గడప దాటిన ఎలుక

ఆ వీధిలో ఆవిడ అసలు పేరు ఎవరికీ గుర్తులేదు. రాయొదిన అంటారు. రాతిగుండె వదిన అని మొదట ఎదురింటి టైలరమ్మ అంది, అందరికీ నచ్చింది, అలా అతుక్కుపోయింది. ఆవిడ మొగుడేమో వెన్నన్నయ్య. ఆయన పుట్టి బుద్ధెరిగాక ఎవరికీ కాదని చెప్పినవాడు కాదు, ఒక్క పెళ్ళానికి తప్ప. అలాంటివాళ్ళకి వీధిలో మంచి పేరు రాకేం చేస్తుంది?

వాళ్ళది ఎలుకల వ్యాపారం. నవ్వకండి, అదీ ఒక వ్యాపారమే. ఇంటి వెనక పొడుగాటి షెడ్డు, దానికి మధ్యలో గోడ. గోడకి ఇవతల తెల్లగది. అందులో ఎర్రకళ్ళ తెల్ల ఎలుకలు. మందులు పరీక్షించే పరిశోధన కేంద్రానికి వెళ్ళేవి అవే. గోడకి అవతల రంగులగది. చాక్లెట్ రంగువి, బూడిద రంగువి, మచ్చలవి పెంపుడు జంతువులమ్మే కొట్లకి, ముచ్చటపడి వచ్చే పిల్లలకి. తెల్లగది ఆవిడ మావగారు పెట్టింది. రంగులగది వెన్నన్నయ్య సరదా.

పెళ్ళై వచ్చిన కొత్తలో ఆవిడకి ఆ వాసనే పడేది కాదు. మగ ఎలుకల ఉచ్చ వాసన ఒకసారి బట్టలకి పట్టిందంటే ఎన్ని ఉతుకులు ఉతికినా వదలదు. బస్సులో పక్కన కూర్చున్నవాళ్ళు ముక్కు ఎగబీల్చి, ఆవిడ వంక చూసి, లేచి వెనక సీటుకి పోయేవాళ్ళు. ఇంటికొచ్చి ఏడ్చేది. వెన్నన్నయ్య భుజం తట్టి, "పోనీలేవే, అలవాటైపోతుంది" అని బయటికెళ్ళి పిల్లలతో కబుర్లు చెప్పుకునేవాడు. గంపెడు పని మాత్రం లోపలే ఉండేది.

పని నేర్పింది మావగారు. తలుపు తీసేముందు గొంతు సవరించుకోవాలి. చప్పుడు చెయ్యకుండా దొంగలా వెళితే బాలింత ఎలుక బెదిరి పిల్లల్ని తినేస్తుంది. పెట్టెలో రంపపు పొట్టు మార్చేటప్పుడు పాత గూట్లోంచి గుప్పెడు తీసి కొత్తదాంట్లో వెయ్యాలి, తన వాసన తనకి కావాలి దానికి. పుట్టిన పిల్లలు వేలి కొసంత ఉంటాయి, గులాబీ రంగులో, చర్మం కింద పేగులు కూడా కనబడతాయి. పాలు తాగిన పిల్లకి పొట్టలో తెల్లటి చార మెరుస్తుంది. పొద్దున్నే చూడాల్సింది అదే. చార ఉంటే బతికినట్టు, లేకపోతే ఆశ వదులుకోవాల్సిందే.

అన్నిటికన్నా గట్టిగా చెప్పినవి రెండు మాటలు. స్నానం చేసి ముందు తెల్లగదిలోకి వెళ్ళాలి, ఆ తర్వాతే రంగులగదిలోకి. రంగులగదిలో కాలు పెట్టినవాళ్ళు మళ్ళీ తలమీద నీళ్ళు పోసుకుని బట్టలు మార్చుకుంటే గానీ తెల్లగది తలుపు ముట్టుకోకూడదు. రెండోది, గడప దాటిన ఎలుక మళ్ళీ లోపలికి రాకూడదు. అమ్మింది అమ్మిందే. ఎక్కడెక్కడ తిరిగి ఏ రోగం అంటించుకుని వస్తుందో ఎవరికి తెలుసు?

మావగారు మంచాన పడ్డప్పుడు తెల్లగది తాళంచెవి కోడలి చేతిలో పెట్టాడు. కొడుకు అక్కడే నిలబడి ఉన్నాడు.

"వాడికి మనసు మంచిది తల్లీ. అందుకే వాడికివ్వడం లేదు" అన్నాడు.

ఆ ఇంట్లో ఆవిడ మాట చెల్లే చోటు అదొక్కటే. ఏం కొనాలి, ఎవరిని పిలవాలి, ఎవరికి చేబదులివ్వాలి అన్నీ వెన్నన్నయ్య నోటి మంచితనం మీద నడిచిపోయేవి. తెల్లగదిలో మాత్రం ఆవిడ చెప్పిందే. కేంద్రం నుంచి డాక్టరమ్మ వచ్చి ఎలుకల రక్తం పరీక్షకి తీసుకెళ్ళేది, ప్రతిసారీ శుభ్రంగా ఉన్నాయని కబురొచ్చేది. ఆ రోజు ఆవిడ నడకే వేరుగా ఉండేది. పిల్లాపాపా లేరు వాళ్ళకి. ఉన్నదల్లా ఆ గది.

మరి రాయొదిన అన్న పేరెందుకొచ్చిందంటారా? కొన్న ఎలుకని వెనక్కి తెచ్చినవాళ్ళని గేటు దగ్గరే నిలబెట్టేది. "మేం తీసుకోం, మీరే పెంచుకోండి" అని తలుపేసేది. పిల్లలు ఏడిచేవాళ్ళు. ఎదురింట్లోంచి టైలరమ్మ మిషను ఆపి మరీ చూసేది. "ఎలుకపిల్లకి ఇంత చోటివ్వలేదా మహాతల్లి!" అని బుగ్గలు నొక్కుకునేది. ఆవిడకి వినబడేది. వినబడాలనే అనేవాళ్ళు కదా.

అలా సాగుతుండగా ఒకసారి ఆవిడకి జ్వరమొచ్చింది. లేచి నిలబడితే గోడలు తిరుగుతున్నాయి. తప్పక తాళంచెవి మొగుడికిచ్చింది. సాయంత్రం ఆయన వచ్చి మంచం పక్కన కూర్చున్నాడు.

"తెల్లగదిలో మేత వేశారా?"

"వేశానే."

"ముందు అక్కడికే వెళ్ళారా?"

"అబ్బబ్బ, జ్వరంలో కూడా ఈ పోలీసు ప్రశ్నలేంటే? అన్నీ అయిపోయాయి, పడుకో."

ఆవిడ పడుకుంది. అదే ఆవిడ చేసిన పాపం.

ఒళ్ళు కుదుటపడి తెల్లగదిలోకి వెళ్ళాక కొన్నాళ్ళు బాగానే ఉంది. ఒక పొద్దున్న గొంతు సవరించుకుని, తలుపు తీసి, మొదటి పెట్టెలో గూడు మెల్లిగా తప్పించి చూసింది. పిల్లలున్నాయి. ఏ ఒక్కదాని పొట్టలోనూ చార లేదు. రెండో పెట్టె చూసింది. మూడోది చూసింది. వాటిలోనూ అంతే. తల్లులేమో నిక్షేపంగా తిరుగుతున్నాయి, మేత తింటున్నాయి. పిల్లలు మాత్రం చల్లబడి ముడుచుకుపోయి ఉన్నాయి.

ఎవరో చెప్పినట్టు ఆవిడ కాళ్ళు రంగులగది వైపు నడిచాయి. అక్కడ కింది వరసలో, మేత సంచుల చాటున పెట్టిన పెట్టెలో, చెవి కొస తెగిన చాక్లెట్ రంగు ఆడ ఎలుక పొట్టులో ముక్కు దూర్చి పడుకునుంది. దాన్ని ఆవిడ ఎరుగును. ఫొటో స్టూడియో అతని కూతురికి అమ్మిన ఎలుక అది.

వెన్నన్నయ్యని పిలిచింది. ఆయన నీళ్ళు నమిలాడు.

"పాపం, వాళ్ళు ఇల్లు మారిపోతున్నారే. కొత్త ఇంటివాళ్ళు జంతువుల్ని వద్దన్నారట. ఆ పిల్ల నా చెయ్యి పట్టుకుని ఒకటే ఏడుపు. ఎలా కాదంటాను చెప్పు?"

"ఎప్పుడు?"

"నీకు జ్వరం కదా, అప్పుడు."

"దీన్ని ఇక్కడ పెట్టి, ఆ చేతుల్తోనే తెల్లగదిలోకి వెళ్ళారా?"

"చేతులు కడుక్కున్నానే! సబ్బుతో!" అన్నాడు, అదేదో ఘనకార్యంలా.

ఆవిడకి ఒళ్ళు మండిపోయింది. మీరైతే ఏమనేవారో నాకు తెలియదు గానీ, నేనైతే అక్కడే ఆ మేత డబ్బా ఎత్తి ఆయన నెత్తిన కొట్టేదాన్ని. ఆవిడ ఇంట్లోకెళ్ళి డాక్టరమ్మకి ఫోన్ చేసింది.

డాక్టరమ్మ వచ్చింది, పరీక్షకి తీసుకెళ్ళింది, మళ్ళీ వచ్చింది. ఈసారి లోపలికి రాలేదు, వాకిట్లోనే నిలబడింది.

"బయటి ఎలుకల్లో ఉండే వైరస్ అమ్మా. పెద్దవాటికి పైకేం తెలియదు, మోస్తూ తిరుగుతాయి. పసివాటిని తినేస్తుంది. ఇక వీటి మీద ఏ మందు పరీక్షించినా ఆ లెక్క నమ్మడానికి లేదు. రెండు గదులూ ఖాళీ చేసెయ్యాలి. అన్నీ."

"అన్నీ అంటే..."

"అన్నీ. ఒక్కటి మిగిలినా అన్నీ మిగిలినట్టే. తర్వాత కడిగి, పొగబెట్టి, నేను చెప్పేదాకా ఖాళీగా ఉంచండి. చిన్నవాళ్ళ దగ్గర కొనడం మానేద్దామని మా పెద్దలు ఎప్పట్నుంచో అంటున్నారు. మీ మీద నమ్మకంతో నేను హామీ ఉంటాను. కొత్త జంటల్ని నేనే తెచ్చిస్తాను. ఇదొక్కసారే చెయ్యగలను." ఆగి, మెల్లిగా అడిగింది. "ఎలా వచ్చింది ఇది?"

"మా పొరపాటే మేడం" అంది ఆవిడ. మొగుడి ఊసెత్తలేదు. ఎందుకు ఎత్తలేదంటే ఏం చెప్పను, అలవాటు.

అన్నిట్నీ చంపాలన్న మాట విని వెన్నన్నయ్య కుప్పకూలిపోయాడు. కళ్ళనీళ్ళు పెట్టుకున్నాడు. "నాకు చేతులు రావే. నేను చూడలేను. అక్క ఇంట్లో ఉంటాను, అయిపోయాక పిలువు" అన్నాడు. వెళుతూ వెళుతూ ఆగి, ఆ చాక్లెట్ ఎలుకని తీసి బిస్కెట్ డబ్బాలో పెట్టుకున్నాడు. "దీని సంగతి నేను చూసుకుంటాలే. తప్పు నాది కదా, దీన్నైనా నీ చేత చేయించను."

ఆవిడ నిర్ఘాంతపోయింది. ఇన్నేళ్ళ కాపురంలో ఆయన ఒక కష్టమైన పని తన మీద వేసుకోవడం అదే మొదటిసారి. పోనీలే, ఇప్పటికైనా తెలిసొచ్చింది అనుకుంది. ఆ ఒక్క మాటకి ఆయన మీద కోపమంతా సగానికి సగం దిగిపోయింది. గేటు దాకా వెళ్ళి సాగనంపింది కూడా.

తర్వాత తలుపేసుకుంది. గ్యాసు పెట్టె తెచ్చింది, కార్బన్ డయాక్సైడ్ సిలిండరు గొట్టం తగిలించింది. గ్యాసు మెల్లిగా వదలాలి. తొందరపడితే అవి ఊపిరాడక గింజుకుంటాయి, మెల్లిగా వదిలితే నిద్రలోకి జారుకున్నట్టు పోతాయి. ఆవిడ తొందరపడలేదు. పెట్టె తర్వాత పెట్టె. లోపలికి వెళ్ళే ప్రతిసారీ గొంతు సవరించుకుంది, బెదరకూడదు కదా అవి. తోక పట్టుకోకుండా దోసిట్లోకి తీసుకుని దించింది. కొన్ని ఆవిడ బొటనవేలు నాకాయి. ఏడుపొచ్చింది, కళ్ళు తుడుచుకుందామంటే చేతులకి తొడుగులున్నాయి, అలాగే కారనిచ్చింది. పని అయ్యేసరికి షెడ్డులో కీచుమన్న చప్పుడు లేదు.

వీధిలో ఏమనుకున్నారో తెలుసా? "ఆయన చూడలేక పారిపోయాడట పాపం. ఈవిడ ఒక్కతే అన్నిట్నీ చంపేసిందట. ఎలా చేతులొచ్చాయమ్మా!" అంది టైలరమ్మ. అక్క ఇంటికి ఫోన్ చేసి మరీ వెన్నన్నయ్యని ఓదార్చినవాళ్ళున్నారు. ఆవిడ ముఖం చూసి ఇంత టీ తాగుతావా అన్నవాళ్ళు లేరు.

ఆవిడ కడిగింది. గోడలు, అరలు, పెట్టెలు, సీసాల మూతులు, నేల పగుళ్ళలో బ్రష్షు పెట్టి మరీ తోమింది. పొగబెట్టింది. అరచేతులు పొట్టు లేచాయి. రాత్రుళ్ళు నిద్రపట్టేది కాదు గానీ మనసులో ఒకటే పట్టుదల. కొత్త జంటలొస్తాయి, మళ్ళీ పొద్దున్నే చార చూస్తాను.

చివరికి డాక్టరమ్మ మూలమూలలా తుడిచి పరీక్ష చేయించి, సరేనంది. జంటల్ని తెచ్చే రోజు చెప్పింది. ఆ కబురు ఆవిడే మొగుడికి ఫోన్‌లో చెప్పింది, సంతోషం పట్టలేక.

డాక్టరమ్మ కారు ఆగింది. గాలి వడగట్టే మూతలున్న పెట్టెని రెండు చేతుల్తో పట్టుకుని దిగింది. ఆవిడ తలస్నానం చేసి, ఉతికిన బట్టలు కట్టుకుని ఎదురెళ్ళింది. ఇద్దరూ షెడ్డు దగ్గరికి నడిచారు. తెల్లగది తలుపు బార్లా తీసి ఉంది.

లోపల వెన్నన్నయ్య. పొద్దున్న బస్సుకే వచ్చాడట, పెరటి దోవన, స్నానానికి వెళ్తూ ఆవిడ మేకుకి తగిలించిన తాళంచెవి తీసుకున్నాడట. చుట్టూ వీధి పిల్లలు, వెనకాల టైలరమ్మ. మధ్య అర మీద బిస్కెట్ డబ్బా. మూత తీసి ఉంది. చెవి కొస తెగిన చాక్లెట్ ఎలుక అర మీద అటూ ఇటూ తిరుగుతోంది.

"చూశావుటే! చంపడానికి మనసొప్పలేదు. దీన్నొక్కదాన్నైనా బతికించాను!" అన్నాడు, ముఖమంతా వెలిగిపోతూ. "కొత్తవి వస్తున్నాయన్నావుగా, దీనికి తోడుంటాయని ఇక్కడ వదిలాను."

పిల్లలు చప్పట్లు కొట్టారు. టైలరమ్మ కళ్ళొత్తుకుంది. "నీ మనసు బంగారం అన్నయ్యా!"

డాక్టరమ్మ గడప బయటే ఆగిపోయింది. పెట్టెని ఛాతీకి దగ్గరగా లాక్కుంది.

"ఇది బతికుందని మీకు తెలుసా?"

"తెలియదు మేడం."

డాక్టరమ్మ నమ్మినట్టే ఉంది. నమ్మి ఏం లాభం? "నేను పైవాళ్ళకి మాటిచ్చానమ్మా. ఇంకోసారి ఇవ్వలేను" అంది. కారు తలుపు వేసుకుంది. పెట్టెలో ఎలుకలు పొట్టు తవ్వుకుంటున్న చప్పుడు ఆవిడకి కిటికీలోంచి వినబడింది. కారు వెళ్ళిపోయింది.

"కొత్తవి ఇవ్వలేదేమే?" అన్నాడు వెన్నన్నయ్య.

ఇప్పుడు తెల్లగదిలో టైలరమ్మ బట్టల మూటలున్నాయి. అడిగింది, ఆయన కాదనలేదు. కేంద్రానికి వేరే ఎవరో పెద్ద కంపెనీవాళ్ళు ఇస్తున్నారు. చాక్లెట్ ఎలుక వంటింటి కిటికీలో పంజరంలో ఉంది. ఇంటికెవరొచ్చినా వెన్నన్నయ్య దాన్ని చూపించి ఆ కథ చెబుతాడు. వాళ్ళు ముక్కు మీద వేలేసుకుంటారు. మేత వెయ్యడం, నీళ్ళ సీసా కడగడం, పొట్టు మార్చడం మాత్రం ఆయనకి గుర్తుండదు. ఆవిడే చేస్తుంది. "రాయి కూడా కరిగింది చూశారా" అని నవ్వుతుంది టైలరమ్మ.

ఆవిడ గొంతు సవరించుకుంటే చాలు, అది ఎక్కడున్నా పరిగెత్తుకొచ్చి ఊచల దగ్గర నిలబడుతుంది. ఆయన ఎంత ముద్దుగా పిలిచినా తోకైనా కదపదు.

"ప్రాణం పోసింది నేనైతే నీ దగ్గరికొస్తుందేమిటే ఇది?" అన్నాడు ఒకరోజు, నిజంగానే నొచ్చుకుని.

"మేత వేసేది నేను కదండీ" అంది ఆవిడ, సీసా బిగిస్తూ.

ఆ విషయం మీద ఇన్నాళ్ళలో ఆవిడ ఆయనతో అన్న మాట అదొక్కటే.