పెద్దకర్మ కార్డులో తేదీ

ఆ రోజుల్లో నల్లకోటు తొడుక్కుంటే చాలు, చట్టమంతా నా భుజాల మీదే ఉందనుకునేదాన్ని. (కోటు మా అన్నయ్యది. భుజాలు మోచేతుల దాకా జారేవి.) తొంభైల్లో బందరు కోర్టులో జూనియర్‌గా చేరి అప్పటికి ఎనిమిది నెలలు. మా క్లయింటు నాగాయలంక వైపు పెద్దాయన. తన రెండెకరాలకు నీళ్ళొచ్చే బోదెను పక్కచేను తమ్ముడు వరసాయన పూడ్చేశాడని దావా వేసి, పన్నెండేళ్ళు నడిపి, తీర్పు వినకుండానే పోయాడు. ఆయన భార్య పెద్దకర్మ కార్డు తెచ్చి నా చేతిలో పెట్టింది. వాది పోతే తొంభై రోజుల్లోగా వారసుల్ని కేసులో చేర్చాలి. లేకపోతే దావా వీగిపోతుంది, ఆవిడ చేను ఎండుతుంది. "లెక్క జాగ్రత్త అమ్మాయ్" అన్నారు మా సీనియర్ గారు. నేను క్యాలెండరు మీద రోజూ గీత పెట్టి, సరిగ్గా ఎనభై తొమ్మిదో రోజున పిటిషన్ వేసి, ఒక రోజు మిగిల్చానని మురిసిపోయాను.

గీతలు మొదలెట్టింది కార్డులో పెద్ద అక్షరాల్లో ఉన్న పెద్దకర్మ తేదీ నుంచి. ఆయన పోయిన తేదీ పైన చిన్న అక్షరాల్లో ఉంది. అవతలి వకీలు లేచి "గడువు దాటి తొమ్మిది రోజులండీ" అనేసరికి కట్టలోంచి కార్డు తీసి మళ్ళీ చదివాను. మా సీనియర్ గారు నన్ను ఒక్క మాటా అనకుండా, దావాను తిరిగి నిలబెట్టమని ఇంకో పిటిషన్ రాశారు. తిట్టినా బాగుండేది. "పోన్లే అమ్మా, చిన్నపిల్లవి" అని ఆవిడే నన్ను ఓదార్చింది.

వాయిదా రోజున అవతలి వకీలు గట్టిగా అభ్యంతరం చెబుతుంటే, వెనక బెంచీ మీంచి బోదె పూడ్చినాయనే లేచాడు.

"నాకు అభ్యంతరం లేదండీ. అన్న పాడె మోసింది నేనే. బతికుండగా ఆయన్ని ఓడించలేకపోయాను. ఇప్పుడీ అమ్మాయి లెక్క తప్పిందని గెలిస్తే ఊళ్ళో ఏం మొహం పెట్టుకు తిరగనండీ? ఇక వదినతో కొట్లాడతాను."

జడ్జి గారు కళ్ళజోడు తీసి తుడుచుకుని, పిటిషన్ అనుమతించారు. అవతలి పక్షంలో అంత పెద్దమనిషిని నేను మళ్ళీ చూడలేదు. వరండాలో ఆవిడ "మరి బోదె తవ్వెయ్యొచ్చుగా మరిదీ?" అంది. "అది కోర్టులో తేలాల్సిందే వదినా" అంటూ ఆమె సంచీ అందుకుని బస్టాండు దాకా మోశాడు.

రెండేళ్ళకి ఆవిడ తొలి బస్సుకే వచ్చింది. కళ్ళు వాచి ఉన్నాయి. "మరిది నిన్న పొద్దున పోయాడమ్మా. వాడి కొడుకుని కేసులో చేర్చాలిగా. కార్డు అచ్చయితే నువ్వు లెక్క తప్పుతావని ముందే వచ్చాను."

ఈసారి తప్పలేదు. కేసు గెలిచాం, బోదెలో నీళ్ళొచ్చాయి. ఇప్పటికీ నా జూనియర్ల చేతిలో అలాంటి కార్డు చూస్తే, జారే కోటులో గీతలు గీసుకునే ఆ పిల్ల గుర్తొచ్చి నవ్వుకుంటాను. ఆ వెంటనే తీర్పు కాపీ చేతిలో పట్టుకుని నిలబడ్డ ఆవిడా గుర్తొస్తుంది.

"వాడుంటే ఈపాటికి అప్పీలుకెళ్ళేవాడమ్మా" అంది, కొంగుతో కళ్ళు తుడుచుకుంటూ.