చిన్న గాంధారం ఏడవలేదు

పెద్ద గాంధారం సంతోషం, చిన్న గాంధారం దుఃఖం. ఆ కొబ్బరి తోటలో ఈ మాట మొదట అన్నది నేనే. తరువాత ఆ మాటను ఓడించడానికి నోరు నొప్పి పుట్టేలా వాదించిందీ నేనే. మొదటిది మింగేసి రెండోదే చెప్పుకోవచ్చు, చాలామంది అలాగే చేస్తారు. నాకు ఆ అలవాటు లేదు.

సంగీతం రానివాళ్ల కోసం ఒక్క ముక్క. సరిగమల్లో మూడోది గాంధారం. షడ్జం నుంచి దానికున్న దూరం కాస్త ఎక్కువైతే పెద్ద గాంధారం, అర మెట్టు తగ్గితే చిన్న గాంధారం. విద్వాంసులు వాటికి వేరే పేర్లు పెట్టారు. మా తోటలో ఆ పేర్లతో ఎవరికీ పని పడలేదు కనుక ఇక్కడా పడదు.

మద్రాసులో నేను కాలేజీలో చదివేటప్పుడు మాకు పియానో నేర్పిన దొరసాని స్వదేశం వెళ్లిపోతూ ఒక లావుపాటి పుస్తకం నా చేతిలో పెట్టింది. దాదాపు నాలుగు వందల ఏళ్ల కిందట ఇటలీలో సంగీత శాస్త్రం రాసినవాళ్ల గురించి అది. వాళ్లలో ఒకాయన, పెద్ద క్రైస్తవ గుడిలో పాటగాళ్లకు గురువు, స్వరాల మధ్య దూరాలకు లెక్కలు కట్టాడు. ఐదుకు నాలుగు పాళ్లుగా తీగను ఆపితే పెద్ద గాంధారం పలుకుతుంది, ఆరుకు ఐదు పాళ్లుగా ఆపితే చిన్నది. పెద్దది వింటే మనసు ఉల్లాసపడుతుందనీ, చిన్నది వింటే మెత్తబడి దిగులు పడుతుందనీ, పాటలో మాట ఏ రసంలో ఉంటే స్వరమూ ఆ రసంలోనే నడవాలనీ ఆయన తీర్మానం. పద్దెనిమిదేళ్ల పిల్లకు ఇంతకన్నా ఏం కావాలి? నవ్వుకీ ఏడుపుకీ అంకెలు దొరికాయని హాస్టలంతా చాటింపు వేశాను. నాకు నచ్చిన వాక్యాల కింద ఎర్ర పెన్సిలుతో గీతలు గీశాను. సగం పుస్తకం దాకా గీసి, ఇక తెలియవలసింది ఏమీ లేదనుకుని మూసేశాను.

పెళ్లయ్యాక ఆ పుస్తకం నాతోపాటు ఓడెక్కి మలయా వచ్చింది. మా ఆయనకు సుంగై సుమున్ దగ్గర తోట ఆసుపత్రిలో మందులిచ్చి కట్లు కట్టే డ్రెస్సరు ఉద్యోగం. నేను తోట బడిలో తెలుగు పిల్లలకు చదువు చెప్పేదాన్ని, ఆదివారాలు గుడిలో ఆడవాళ్లకు పాటలు నేర్పేదాన్ని. అక్కడి క్రైస్తవ కుటుంబాలన్నీ విశాఖపట్నం, చికాకోలు వైపు నుంచి కూలికి వచ్చినవాళ్లవి. గుడిలో వరసగా నిలబడాలి, చేతులు కట్టుకోవాలి, తొందర లేకుండా నిదానంగా పాడాలి అని వాళ్లకు ఏళ్ల తరబడి చెప్పాను. చెప్పిన పని అయ్యేదాకా వదిలే రకం కాను నేను.

మా గుడికి పాదిరి తెలుక్ ఆన్సన్ టౌను నుంచి నెలకు రెండుసార్లు సైకిలు మీద వచ్చే తెలుగు అయ్యగారు. నాకన్నా పదేళ్లు చిన్న, నాకన్నా పది రెట్లు గంభీరం. హార్మోనియం మాత్రం బాగా వాయించేవారు. చదవడానికి ఏమైనా ఉందా అని అడిగితే ఆ పుస్తకం ఇచ్చాను. నెల తిరిగేసరికి నా ఎర్ర గీతలన్నీ ఆయనకు కంఠస్థమయ్యాయి.

ఆ ఏడు ఈస్టరుకు చుట్టుపక్కల నాలుగు తోటల వాళ్లు మొదటిసారి మా గుడిలో కూడాలని నిర్ణయించారు. మా ఆడవాళ్ల తరఫున ఒక పాట ఉండాలన్నారు. అప్పుడు ముందుకొచ్చింది మామ్మ. తోటలో అందరూ ఆమెను అలాగే పిలిచేవారు. ఎండుకొబ్బరి కొట్టంలో చిప్పల నుంచి కొబ్బరి తీసే ఆడవాళ్లకు పెద్ద. జ్వరాలు వచ్చిన ఏడు ఆమె ఒక్కగానొక్క కూతురు పోయింది. ఆ తరువాతి ఈస్టరుకు, చదువు రాని ఆ మనిషి, క్రీస్తు సమాధి మీది రాయి దొర్లిన సంగతి మీద పాట కట్టింది. కొట్టంలో పాడుకుంటారని వినడమే గాని నేను వినలేదు. మా ఇల్లు తోట దొర బంగళా పక్కన ఉండేది. కొట్టం వాసన పడదని అటు వెళ్లేదాన్ని కాదు.

"నాలుగు తోటలోళ్ల ముందర నా పిల్ల పాట ఒక్కపాలి ఇనిపిస్తే సాలు టీచరమ్మా" అంది మామ్మ.

ఈస్టరుకు వారం ముందు, మట్టల ఆదివారం ఆరాధన అయ్యాక, పాట విన్నాం. పది మంది వరసగా నిలబడి చేతులు కట్టుకున్నారు. మామ్మ ఎత్తుకుంది: "రాయి దొర్లిపోనాది రారండమ్మా." మిగతావాళ్లు అందుకున్నారు: "లేడమ్మా లేడు, లేసిపోనాడు." రెండో చరణానికే హార్మోనియం మీద అయ్యగారి చెయ్యి ఆగిపోయింది.

"ఇది మట్టి చేసే చోట పాడవలసిన పాటమ్మా" అన్నారు. "క్రీస్తు లేచాడని చెప్పవలసిన రోజు మీరింకా సమాధి దగ్గరే కూర్చున్నారు."

"లేసిపోనాడనే కద బాబూ పాడతన్నాం."

"మాట లేచింది, స్వరం లేవలేదు. ఇందులో గాంధారం చిన్నది. కావాలంటే టీచరుగారిని అడగండి."

అందరూ నా వైపు చూశారు. చిన్నదే. నేను తలూపాను. ఆ తలూపడం నా జీవితంలో నేను చేసిన తెలివితక్కువ పనుల్లో పెద్దది.

అయ్యగారు పెద్ద గాంధారం నొక్కి, అదే పాట అలా పాడమన్నారు. పాడారు. మూడు మాటలకే ఒక పడుచు నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. "మామ్మా, ఇది సర్కసోడి బేండులాగుంది" అని పక్కదానితో అనడం మా అందరికీ వినబడింది. వరస అంతా నవ్వింది, మామ్మ తప్ప.

"టౌను కోయిరును పిలిపిస్తాను, నాలుగు గొంతుల కీర్తన పాడతారు" అన్నారు అయ్యగారు.

మామ్మ ఆయన ఎదురుగా వచ్చి నిలబడింది. "పాట బాగోనేదంటే మానేస్తాను అయ్యగోరూ. నా పిల్లకి నాను ఏడుపు కట్టినానంటే మాత్రం ఒప్పుకోను. ఏడుపు నాకొచ్చు. ఇది అది కాదు" అని వెళ్లిపోయింది. ఆమె రాకపోతే మేమూ రామని మిగతా తొమ్మిది మందీ ఆమె వెనకే వెళ్లారు.

ఇంటికి వచ్చి జరిగింది చెబితే మా ఆయన నవ్వారు. "ఆయన్ని ఎందుకు తిడతావు? పుస్తకం నీదే, గీతలూ నీవే."

కట్టుకున్నవాడు నిజం చెబితే వచ్చే కోపం వేరు. ఆ కోపంతోనే అయ్యగారి దగ్గర నుంచి పుస్తకం వెనక్కి తెప్పించి, ఇరవై ఏళ్ల కిందట మూసిన పేజీ దగ్గర తెరిచాను. ఇన్నాళ్లూ ఎందుకు చదవలేదా అని నన్ను నేను తిట్టుకుంటూ చదివాను. ఒకే స్వరమేళాన్ని ఒక శాస్త్రకారుడు కోపానికన్నాడు, మరొకడు విలాపానికన్నాడు. ఆ గుడి గురువు దగ్గర చదువుకున్న ఒక శిష్యుడైతే, వీణలాంటి వాద్యం వాయించేవాడట, గురువు మీదే తిరగబడి పుస్తకం రాశాడు. ఆ మనిషి నాకు వెంటనే నచ్చేశాడు.

పండుగ పనుల కోసం అయ్యగారు ఆ వారమంతా తోటలోనే ఉన్నారు. మంగళవారం ఉదయం మా అరుగు మీద కూర్చోబెట్టి కాఫీ ఇచ్చి మొదలుపెట్టాను.

"మీ ఇటలీ గురువుగారి మీద ఆయన శిష్యుడే తిరగబడ్డాడు. చదివారా?"

"అంతవరకు రాలేదండి."

"నాలుగు గొంతులు కలిపి పాడితే ఏ రసమూ నిలవదంటాడు. ఒక గొంతు పైకి పోతుంటే ఇంకొకటి కిందికి దిగుతుంది, ఒకటి పరుగెత్తుతుంటే ఒకటి కాళ్లీడుస్తుంది. నవ్వూ ఏడుపూ ఒకేసారి చెవిలో పోస్తే వినేవాడు ఏం చేస్తాడు? గడియారం చూసుకుంటాడు. మీ టౌను కోయిరు పాడేటప్పుడు నేను చేసేది అదే."

"అది మీ ఓపిక సంగతి" అన్నారు అయ్యగారు. ఆయనకూ నోరుందని అప్పుడే తెలిసింది. "శాస్త్రాలు పక్కన పెడదాం. ఆదివారం మీరూ విన్నారు. మీ చెవికి అది ఏడుపులా వినబడలేదా?"

వినబడింది మరి. అయ్యగారు కాఫీ తాగి, గ్లాసు కింద పెట్టి, మర్యాదగా సెలవు తీసుకున్నారు. నన్ను అలా నోరు మూయించినవాళ్లు మలయాలో అప్పటికి ఎవరూ లేరు.

పుస్తకం మళ్లీ తెరిచాను. ఆ శిష్యుడే పాటలు కట్టేవాళ్లకు ఒక సలహా ఇచ్చాడు: నాటకం ఆడేచోటికి వెళ్లండి, ప్రభువు నౌకరుతో ఎలా మాట్లాడతాడో, కోపం వచ్చినవాడూ బెంగ పెట్టుకున్నవాడూ ఎంత వేగంగా, ఏ గొంతుతో మాట్లాడతారో వినండి, రసం అక్కడ దొరుకుతుంది. సుంగై సుమున్‌లో నాటకాలెక్కడివి? ముక్కుకు కొంగు చుట్టుకుని కొబ్బరి కొట్టానికి నడిచాను.

సగం దారిలో ఉండగానే పాట వినబడింది. మొదట వేరే పాట అనుకున్నాను. ఆడవాళ్లు నేల మీద రెండు వరసలుగా ఎదురెదురుగా కూర్చుని, ఎడమ చేత్తో చిప్ప పట్టుకుని, వంపు కత్తి లోపలికి దూర్చి ఒక్క తిప్పుతో కొబ్బరి ఊడదీస్తున్నారు. ఊడిన ముక్క గంపలో పడ్డప్పుడల్లా దెబ్బ పడుతోంది. ఆ దెబ్బ మీద పాట. ఆదివారం విన్నదానికి రెండింతలు వేగం. మామ్మ మాట ముగించకముందే వాళ్లు "లేడమ్మా లేడు" అని పైనబడి లాక్కుంటున్నారు, వాళ్లు ముగించకముందే ఆమె మళ్లీ లాక్కుంటోంది. పరుగెత్తుకొచ్చి కబురు చెప్పేవాళ్లు అలాగే మాట్లాడతారు, ఒకళ్ల నోట్లోంచి ఒకళ్లు లాక్కుని. గాంధారం అదే చిన్నది, వెంట్రుకవాసి కూడా మారలేదు.

"ఆదివారం ఇలా పాడలేదేం?" అన్నాను.

సర్కసు మాట అన్న పడుచు కత్తి ఆపింది. "గుడిలో ఇలగ గెంతులేస్తారేటి టీచరమ్మా? నిదానం నిదానం అని మీరే కద మా పేణం తీసినారు."

"దేవుడి ముందర తొందరపడకూడదని మెల్లగా పాడినాం తల్లీ" అంది మామ్మ. "మరేదకి సేసినాం."

నేను నేర్పిన మర్యాద వల్లే ఆ పాట శవయాత్రలా నడిచింది. అక్కడ నిలబడి చింతించే తీరిక నాకు లేదు. వెళ్లి అయ్యగారిని గొడుగుతో సహా లాక్కొచ్చాను.

ఆయన గుమ్మంలో నిలబడి విన్నారు. ఒక చరణం, రెండో చరణం. మూడోదానికి ఆయన బూటు కదిలింది. నేను చూశానని తెలిసి ఆపారు. మళ్లీ కదిలింది.

"గాంధారం చిన్నదే" అన్నారు చివరికి.

"చిన్నదే. ఇక్కడ ఎవరు ఏడుస్తున్నారో చూపించండి."

ఆయన వరసలన్నీ చూశారు. "స్వరంతో పాటు నడక కూడా మాటను అనుసరించాలని ఆ మొదటి గురువే రాశాడండి" అన్నారు మెల్లగా. "చూసి వదిలేశాను. దాని కింద మీ గీత లేదు."

ఆ దెబ్బ నాకు తగిలింది, ఒప్పుకుంటాను. ఆయన మాత్రం నా ముఖం చూడకుండా మామ్మ దగ్గరికి వెళ్లి, ఆ కొబ్బరి పొట్టులోనే గొంతుక్కూర్చున్నారు. "నాది పొరపాటమ్మా. ఆదివారం ఈ పాటే కావాలి."

మామ్మ చిప్ప ఒకటి పూర్తిచేసి గంపలో పడేసింది. "నిలబడి పాడం బాబూ. కింద కూకుంటాం. సేతులు కట్టుకోం. ఆ గాలిపెట్టి మూసీండి."

"హార్మోనియం మూస్తాను."

ఈస్టరు నాడు గుడి కిటికీల దాకా నిండిపోయింది. బయట తమిళ కుటుంబాలు కూడా నిలబడి చూస్తున్నాయి. బల్లలు వెనక్కి జరిపించి, పది మందీ రెండు వరసలుగా నేల మీద కూర్చున్నారు. కత్తులు, చిప్పలు లేవు కనుక అరచేత్తో నేల మీద దెబ్బ. మామ్మ ఎత్తుకోగానే నాకు భయం పట్టుకుంది, మళ్లీ మర్యాద గుర్తొచ్చి నెమ్మదిస్తుందేమోనని. నెమ్మదించలేదు. "రాయి దొర్లిపోనాది" అన్న మాట చివర పడకుండానే మావాళ్లు లాక్కున్నారు. రెండో చరణానికి పక్క తోటల ఆడవాళ్లు లాక్కున్నారు, ఎవరూ నేర్పకుండానే, వాళ్లవీ కొబ్బరి కొట్టాలే కదా. మూడో చరణానికి మగవాళ్లూ కలిశారు. నేలా బల్లలూ అన్నీ మోగాయి. ముగిసిందనుకుంటే వెనక నుంచి ఎవరో మళ్లీ ఎత్తుకున్నారు. అలా మూడుసార్లు పాడారు. మామ్మ కళ్లు మూసుకోలేదు, తల వంచుకోలేదు. ఎదురుగా ఉన్న నాలుగు తోటల ముఖాల్ని ఒక్కొక్కటిగా చూస్తూ, పెళ్లి కబురు చెప్పేదానిలా పాడింది. గుడిలో ఎన్నడూ కింద కూర్చోని నేను, ఎప్పుడు కూర్చున్నానో తెలియదు, నా అరచేతులు ఎర్రబడ్డాయి.

గడియారం ఎవరూ చూసుకోలేదు. ఆ సంగతి అయ్యగారికి చెప్పకుండా ఉండలేకపోయాను.

మరునాడు ఆయన కాగితాలు, పెన్సిలు తీసుకుని మామ్మ ఉండే కూలి ఇళ్ల లైను ముందుకు వచ్చారు, పాటను స్వరాలతో రాసుకుని మిగతా గుళ్లకు పంపడానికి. మామ్మ ఆయన్ని బోర్లించిన గంప మీద కూర్చోబెట్టి, ఒక్కో ముక్క పాడి, తిరిగి ఆయన చేత పాడించింది. రెండుసార్లు ఆయన పాడింది బాగోలేదని తల అడ్డంగా ఊపింది, ఆయన మూడోసారి పాడారు. నేను వెనక నిలబడి ఆయన భుజం మీదుగా కాగితం చూస్తున్నాను. మూడో చరణంలో అలవాటు కొద్దీ పెద్ద గాంధారం రాశారు. కొట్టివేయించాను.