దానియేలన్న తీసేసిన మాట

ఆదివారం ఆరాధన ముగిసి మందిరం మెట్లు దిగుతుంటే, దానియేలన్న ప్రభువునందు నిద్రించారని ఆదోని నుంచి ఫోను వచ్చింది. "సరే" అన్నాను. ఎమ్మిగనూరులో బస్సెక్కి కూర్చున్నాక గానీ, నా ఒక కాలికి ఎవరిదో చెప్పు ఉండడం చూసుకోలేదు.

దానియేలన్న డాక్యుమెంటరీలు తీసేవారు. కెమెరా, మైకు, ఎడిటింగు అన్నీ ఆయనే. వెనక ఏ కంపెనీ లేదు. గోనెగండ్ల చేలల్లో కూలీల వెంట, ఆదోని పత్తి జిన్నింగు మిల్లుల దుమ్ములో, ముక్కుకు తువ్వాలు కట్టుకొని సగం జీవితం తిరిగారు.

ఆయనకొక నియమం ఉండేది. సినిమా పూర్తి కాగానే మొదట అందులో ఉన్నవాళ్ల ఇంటికే తెచ్చి, గోడకు దుప్పటి కట్టి చూపించేవారు. వాళ్లు వద్దన్న ముక్కను తీసేసేవారు. దాచుకునేవారు కూడా కాదు, పూర్తిగా చెరిపేసేవారు. "వద్దన్నది పెట్టెలో పెట్టుకుంటే దొంగసొమ్మే గదప్పా" అనేవారు.

మా అమ్మ మిల్లు కూలి. ఆమెను తీసిన సినిమా మా ఇంట్లోనే చూపించారు. తెర మీద అమ్మ దూది ఏరుతూ, దగ్గి, పైకి చూసి, "ఏం ప్రభువా, ఈ దూదంతా నీ చెవుల్లోకే పోయినాదా? ఎన్ని తూర్లు పిలవల్ల?" అని నవ్వింది. చూస్తున్న ఆడవాళ్లు పకపకా నవ్వారు. నేను నవ్వలేదు. సంఘ పెద్దను.

"అది తీసేయన్నా" అన్నాను.

"మీయమ్మ సెప్పల్ల, నువ్వు గాదు."

"తీసేయప్పా, మావోడు పెద్దమనిషైనాడు" అంది అమ్మ. "ఇనాల్సినాయన ఇన్నాడులే."

తీసేశారు.

అమ్మ పోయాక, ఆ మాట ఆమె గొంతులో వినాలనిపించి ఆదోని వెళ్లి అడిగాను. "చెరిపేస్తినప్పా" అన్నారు. తర్వాత కళ్లు మూసుకొని ఆ మాట ఆయనే అన్నారు. ఎడిటింగులో ఎన్నిసార్లు విన్నారో! ఎక్కడ దగ్గిందో, ఎక్కడ ఊపిరి తీసుకుందో, ఎక్కడ నవ్విందో అన్నీ అలాగే. అది మా అమ్మే. ఆ తర్వాత ఎప్పుడు వెళ్లినా అడిగేవాణ్ణి. "మళ్లీనా?" అని కసురుకొని, మళ్లీ అనేవారు.

దానియేలన్న సమాధి దగ్గర ప్రార్థన నన్ను చేయమన్నారు. పునరుత్థాన దినాన ఇద్దరినీ చూస్తాను, అందులో నాకు సందేహం లేదు. అయినా లేచి నిలబడితే కంఠతా వచ్చిన ప్రార్థన ఒక్కటీ రాలేదు. "ప్రభువా, ఈ దూదంతా నీ చెవుల్లోకే పోయినాదా?" అన్నాను.

సంఘమంతా "ఆమెన్" అంది.

దగ్గు ఎక్కడ రావాలో నాకు తెలియలేదు. తెలిసిన మనిషిని అప్పుడే మట్టిలో ఉంచాము.