మాళవ్వ గుర్రం

మొన్న కార్తీకమాసంలో, అకాల వాన వెలిసిన ఒక సాయంత్రం, సిర్గాపూర్ నుంచి నారాయణఖేడ్‌కు షేర్ ఆటోలో తిరిగి వస్తున్నాను. మలుపు తిరగ్గానే ఆటో ఆగిపోయింది. రోడ్డు నిండా గొర్రెలు. డ్రైవర్ హారన్ కొడుతున్నాడు, గొర్రెలు వాటి మానాన అవి నడుస్తున్నాయి. నా పక్కన కూర్చున్నామె కొంగుతో ముక్కు మూసుకుంది. నేను మాత్రం తల బయటికి పెట్టి గుండె నిండా పీల్చుకున్నాను. తడిసిన ఉన్ని, పచ్చిపాలు, కట్టెల పొగ, గుర్రపు చెమట అన్నీ కలిసిన వాసన అది. నలభై దాటిన మనిషిని, పదిమందికి పాఠాలు చెప్పే మనిషిని, ఆటోలో అందరి ముందూ కళ్ళు తుడుచుకున్నాను. "ఏమైంది మేడం, దుమ్ము పడ్డదా?" అని డ్రైవర్ అడిగాడు. అవునన్నాను. మాళవ్వ గురించి ఆటోలో ఎలా చెప్పగలను? అందుకే ఇక్కడ రాస్తున్నాను.

మాది మనూర్ దాటాక మంజీర వైపు వెళ్ళే దారిలో ఒక చిన్న ఊరు. మా నాయినకు నల్లరేగడి చేను ఉండేది. జొన్న కోత అయిపోయాక భూమికి బలం కోసం చేనులో గొర్రెల మంద పెట్టించేవాడు. మంద రాత్రంతా చేనులో పడుకుంటే అదే ఎరువు. ఆ మంద తోలుకొని కర్ణాటక వైపు నుంచి కురుబవాళ్ళు వచ్చేవారు. వానలు ఆగగానే సొంత ఊరు విడిచి, మళ్ళీ వానలు మొదలయ్యేదాకా ఊరూరా తిరిగే మనుషులు వాళ్ళు. మగవాళ్ళు గొర్రెలను మేపుకుంటూ వెనక వచ్చేవారు. ఆడవాళ్ళు సంసారం మొత్తం గుర్రాల మీద వేసుకొని ముందే వచ్చి దిగేవారు. వంటగిన్నెలు, గొంగళ్ళు, కాళ్ళు కట్టేసిన కోళ్ళు, ఆ పొద్దునే పుట్టిన గొర్రెపిల్లలు, వాటి మధ్య నిద్రపోతున్న చంటిపిల్లలు అన్నీ గుర్రాల మీదే. ఎక్కడ గుడారం వేయాలి, పొయ్యి ఏ దిక్కున పెట్టాలి, ఏ చేనులో ఎన్నాళ్ళు ఉండాలి, ఎప్పుడు కదలాలి అన్నది మగవాళ్ళు కాదు, ఆ ఆడవాళ్ళలో పెద్దదైన మాళవ్వ చెప్పేది. పొడుగ్గా, నల్లగా, ముక్కుకు పెద్ద బేసరితో ఉండేది. గొంతు మాత్రం బొంగురు. అరవకుండానే అవతలి చేనుదాకా వినపడేది.

నాకు రెండేళ్ళప్పుడు పోలియో వచ్చి కుడికాలు చచ్చుబడిపోయింది. ఊళ్ళో నన్ను చూసిన ప్రతి మనిషీ ముందు "అయ్యో పాపం" అనేవాళ్ళు, తర్వాతే మాట్లాడేవాళ్ళు. మాళవ్వ అలా అనలేదు. నేను చేను గట్టు మీద కూర్చొని వాళ్ళు గుడారం వేయడం చూస్తుంటే, చేతిలో మేకుతోనే నా దగ్గరికి వచ్చి ముందు కూర్చుంది. నా కాలు పట్టుకొని, గొర్రెపిల్ల కాలు చూసినట్టే మోకాలు, మడమ, వేళ్ళు ఒత్తి చూసింది.

"నొప్పున్నదా తాయి?" అంది. తాయి అంటే వాళ్ళ కన్నడంలో తల్లి అని. ఆమె ఆడపిల్లలందరినీ అలాగే పిలిచేది.

"లేదు," అన్నాను.

"నొప్పి లేకుంటే మొకం అట్లెందుకు పెట్టినవ్? బా, పనున్నది."

బా అంటే రా అని. ఆ పని ఏమిటంటే, సాయంత్రం మంద మేత నుంచి తిరిగి వచ్చేదాకా గొర్రెపిల్లలను చూసుకోవడం. తల్లులు మేతకు పోతే పిల్లలు గుడారం దగ్గరే వల కంచెలో ఉండేవి. పొద్దు గూకే వేళ మంద అరుపులు వినపడగానే అవి కంచె మీదికి దూకేవి. అన్నిటినీ ఒకేసారి వదిలితే తొక్కిసలాట, అందుకని ఒక్కొక్కదాన్నే వదలాలి. వదలగానే అది అంత గుంపులో దూరి నేరుగా తన తల్లి దగ్గరికే వెళ్ళేది. నేను కూర్చున్న చోటు నుంచి కదలకుండానే ఆ పని చేయగలిగాను. మా ఇంట్లో నాకు ఎవరూ ఏ పనీ చెప్పేవాళ్ళు కాదు. నా మీద ప్రేమ కొద్దీనే అలా చేసేవాళ్ళు. కానీ ఆ రోజు నా చేతుల నిండా గొర్రెపిల్లల వాసనతో ఇంటికి వచ్చి, ఆకలేస్తోందని అమ్మను గట్టిగా అడిగి అన్నం పెట్టించుకున్నాను. అమ్మ ఆశ్చర్యంగా చూసింది.

వాళ్ళ గుడారంలో మాళవ్వ మామ ఉండేవాడు, నడుము పడిపోయిన ముసలాయన. ఒకరోజు అడిగాను, "అవ్వా, తాత నడవలేడు గదా, రోజూ ఊర్లు మారుతుంటే ఎట్ల?"

ఆమెకు నా ప్రశ్నే అర్థం కానట్టు చూసింది. "గుర్రం మీద కూసోబెడతం. ఇంకేం చేస్తం?" అంది.

మా ఊళ్ళో బడి ఏడో తరగతి వరకే. పై చదువుకు నారాయణఖేడ్ పోవాలి. బస్సు ఊళ్ళోకి రాదు, రోడ్డు దాకా బండ్లబాట. నాయిన నన్ను సైకిల్ మీద కూర్చోబెట్టుకొని కొన్నాళ్ళు తీసుకెళ్ళాడు. వానలు పడగానే రేగడి మట్టి చక్రాలకు ముద్దలు ముద్దలుగా పట్టుకొని సైకిల్ కదలలేదు. భుజాన ఎత్తుకొని కొన్ని రోజులు నడిచాడు. ఒకరోజు జారి ఇద్దరం పడ్డాం, ఆయన చేయి బెణికింది. ఆ తర్వాత బడి మాట ఇంట్లో ఎవరూ ఎత్తలేదు. నేనూ ఎత్తలేదు. పుస్తకాలు అమ్మ అటక మీద పెట్టింది.

ఆ ఏడు మంద దిగినప్పుడు, పగటిపూట కూడా నేను ఇంటి దగ్గరే ఉండడం చూసి మాళవ్వ నాయినను అడిగింది. ఆయన సంగతంతా చెప్పాడు. మర్నాడు పొద్దున మాళవ్వ గౌరిని మా ఇంటి ముందుకు తీసుకొచ్చింది. గౌరి వాళ్ళ ఆడగుర్రం. బూడిదరంగు, పొట్టిది, చెవులు ఎప్పుడూ అటూ ఇటూ తిప్పుతుండేది.

"ఎక్కు," అంది నాతో.

అమ్మ పరుగెత్తుకొచ్చింది. "వద్దు మాళవ్వ, పోరి పడతది!"

"పడితే లేస్తది. నువ్వు పట్టుకుంటే రేపు గూడ నువ్వే పట్టుకోవాల. ఎల్లుండి గూడ నువ్వే. ఎన్నొద్దులు పట్టుకుంటవ్?"

నిజంగానే పడ్డాను. ఒకసారి కాదు. మోచేతులు గీరుకుపోయాయి. అందరూ ఎక్కినట్టు ఎడమవైపు నుంచి ఎక్కితే కుడికాలు గుర్రం వీపు మీదుగా అవతలికి వేయలేకపోయేదాన్ని. మాళవ్వ రెండు రోజులు చూసి, గౌరిని ఇంటి అరుగు పక్కన నిలబెట్టడం నేర్పింది. నేను అరుగు మీద కూర్చొని, అక్కడి నుంచి చేతులతో కుడికాలు ఎత్తి అవతలికి వేసుకొని, గుర్రం మీదికి జరగాలి. కాలు జారిపోకుండా గొర్రె ఉన్నితో మెత్తటి తాడు పేని, మోకాలికి తగిలించే ఉచ్చు ఒకటి చేసింది. దాన్ని నా కాలికి కొలిచి, విప్పి, మళ్ళీ పేని, చివరికి సరిపోయాక గౌరి వీపు మీద చిన్నగా కొట్టింది. గౌరి కదిలింది. మా వాడ గోడల మీదుగా అవతలికి మొదటిసారి చూశాను. ఆ రోజు దాకా లోకమంతా నాకంటే ఎత్తులోనే ఉండేది.

నాయిన మాత్రం వెనకాడాడు. "ఏంది మాళవ్వ, ఆడపిల్ల గుర్రమెక్కి పోతే ఊరంత నవ్వదా?"

"నవ్వని పటేలా. నవ్వేటోళ్ళు ఎత్తుకపోయి బస్సెక్కిస్తరా?"

నాయిన మెల్లగా అన్నాడు, "మీరు నాలుగొద్దులుండి పోతరు. గుర్రం మీతోనే పోతది. పిల్లకు లేనిపోని ఆశెందుకు?"

"గౌరి ఈడనే ఉంటది," అంది మాళవ్వ.

ఆ మాటకు వాళ్ళ గుడారంలో పెద్ద గొడవయింది. మరిది బీరప్ప గట్టిగా అరవడం మా గట్టు దాకా వినపడింది. వాళ్ళ కన్నడం మాకు కొంత తెలుసు. గౌరి గుడారం మోసే గుర్రం. అది లేకపోతే గుడారం ఎవరు మోయాలి, నీ నెత్తి మీద పెట్టుకుంటావా అని అతని ప్రశ్న. న్యాయమైన ప్రశ్నే. తిరిగే బతుకులో గుర్రమంటే ఇంటి దూలం లాంటిది. మాళవ్వ ఎంతసేపూ ఒకే మాట చెప్పింది, పెట్టుకుంటానని.

వాళ్ళు కదిలిన రోజు పొద్దున నేను చూశాను. గుడారం గుడ్డను రెండు మూటలు చేసింది. ఒకటి మరో గుర్రం మీద వేసింది, రెండోది తన నెత్తి మీద పెట్టుకుంది. నాయిన జొన్నల బస్తా తీసుకెళ్ళి ముందు పెడితే "బ్యాడ, బ్యాడ" అని చేయి అడ్డం పెట్టింది. "గౌరిని అమ్మలేదు పటేలా. పిల్ల చదువు అయ్యేదాక ఉంటది. యేడాదికొకసారి వచ్చి చూసిపోత." నన్ను చూసి, "గౌరికి నీళ్ళు పెట్టినంకనే నువ్వు తిను," అంది. అంతే. వెనక్కి తిరిగి చూడకుండా నడిచింది. తోవ కనపడినంత దూరం ఆ మూట కనపడుతూనే ఉంది.

ఊరు నవ్వింది. పిల్లలు "గుర్రం సుగుణ" అని వెంటపడ్డారు. రోడ్డు మీద చాయ్ హోటల్ నడిపే అన్న గౌరిని తన రేకుల పాక వెనక కట్టేసుకోనిచ్చాడు. నేను కర్ర ఊతంతో బస్సెక్కి బడికి పోయి, సాయంత్రం దిగి, హోటల్ బల్ల మీది నుంచి మళ్ళీ గౌరినెక్కి ఇంటికి వచ్చేదాన్ని. మొదటి వానాకాలం వచ్చాక నవ్వులు తగ్గాయి. బాట బురదయి, ఊళ్ళో కొత్త సైకిళ్ళు కొన్న మగపిల్లలంతా సైకిళ్ళను భుజాన వేసుకొని నడుస్తుంటే, నేను వాళ్ళ పక్క నుంచే గుర్రం మీద వెళ్ళాను. ఆ ఆనందం ఇప్పుడు తలచుకున్నా నవ్వొస్తుంది. ఏటా మాళవ్వ వచ్చేది. ముందు గౌరి గిట్టలు ఎత్తి చూసేది, పళ్ళు చూసేది, తర్వాత నా వైపు తిరిగి "పాసయినవా?" అని అడిగేది. అయ్యానంటే తల ఊపేది. అంతకు మించి మెచ్చుకోలు ఎరగను.

నేను పదో తరగతి దాటి, నారాయణఖేడ్‌లో హాస్టల్లో చేరాక గౌరిని తీసుకెళ్ళింది. అప్పటికి దానికి వయసు మీద పడింది. ఒక్క గొంగడి మాత్రం దాని మీద వేసి, మిగతా బరువంతా వేరే గుర్రాలకు పంచింది.

ఆ తర్వాత మా వైపు బోర్లు పడ్డాయి, చెరుకు వచ్చింది. ఖాళీ చేలు తగ్గాయి. నేను డిగ్రీ చదివే రోజుల్లో సెలవులకు ఇంట్లో ఉన్నప్పుడు, ఎవరి చెరుకులోనో గొర్రెలు దూరాయని కొందరు కుర్రాళ్ళు వచ్చి మాళవ్వ గుడారం తాళ్ళు కోసేశారు. నాయిన, నేను వెళ్ళేసరికి ఆమె కింద పడ్డ గుడ్డను మడత పెడుతోంది. నాకు కోపం ఆగలేదు. "పంచాయతీ పెడదాం అవ్వా. తప్పు మీది కాదు. మేం చెప్తం," అన్నాను.

"పంచాయతీల గెలిస్తే వచ్చే యేడు వాళ్ళ కండ్ల ముంగట్నే దిగాల," అంది. "మందకు పొద్దుగాల నీళ్ళు గావాల తాయి. నాకు గదే పరేషాన్." ఆమె గొంతు ఎప్పటిలాగే ఉంది. కానీ మడత పెట్టిన గుడ్డనే విప్పి మళ్ళీ మడత పెట్టింది. ఆ ఏటి తర్వాత మా ఊరికి మంద రాలేదు.

చాలా ఏళ్ళకు, నేను నారాయణఖేడ్‌లో ఆడపిల్లల బడిలో టీచరుగా కుదురుకున్నాక, కర్ణాటకలోని ఔరాద్ వైపు నుంచి వచ్చే ఒక గొంగళ్ళ వ్యాపారిని అడిగి ఆమె ఆచూకీ తెలుసుకున్నాను. నా మూడు చక్రాల స్కూటీ మీద ఒక్కదాన్నే బయల్దేరాను. మంద అమ్మేశారట. కొడుకులు హైదరాబాదులో బిల్డింగు పనులకు పోయారు. రోడ్డు పక్కన రేకుల ఇంటి ముందు మాళవ్వ కూర్చొని ఉంది. బాగా చిక్కిపోయింది. నన్ను గుర్తుపట్టడానికి క్షణం పట్టలేదు. లేచి వచ్చి స్కూటీ చుట్టూ తిరిగి, వెనక చక్రాలు కాలితో తన్ని చూసింది.

"నేనెక్కొచ్చా?"

వెనక కూర్చోబెట్టుకున్నాను. నా భుజం గట్టిగా పట్టుకొని, "జల్దీ పో," అంది. ఆ వయసులో ఆమె అంత గట్టిగా నవ్వగలదని నాకు తెలియదు. ఊరు దాటాక ఎవరిదో మంద మేస్తోంది. ఆపమంది. దిగి గొర్రెల్లోకి నడిచి, ఒకదాని వీపు మీద ఉన్ని విడదీసి చూసి, ఆ కాపరిని ఎక్కడి నుంచి వస్తున్నావు, ఎటు పోతావు, వాగులో నీళ్ళున్నాయా అని అడిగింది. తిరిగి వచ్చి గట్టు మీద నా పక్కన కూర్చుంది. అప్పుడు ఎన్నాళ్ళుగానో అడగాలనుకున్నది అడిగాను.

"అవ్వా, రోజుకు ఎంత దూరం నడవాలని ఎట్ల అనుకునేటోళ్ళు?"

"ఈనబోయే గొర్రె ఎంత నడిస్తే అంత," అంది మంద వైపే చూస్తూ. "మందల అన్నిటికంటె మెల్లగ నడిచేది అదే. అది ఆగిన కాడ గుడారం ఏసేటోళ్ళం."

ఆ మరుసటి ఎండాకాలం మాళవ్వ పోయింది. వాళ్ళ మనవడు ఫోన్ చేసి చెప్పాడు. అప్పటికే అంతా అయిపోయింది. ఆ రోజు బడికి పోలేదు. ఏం చేయాలో తోచక వాకిట్లో స్కూటీ కడుగుతూ కూర్చున్నాను.

మా బడిలో ఏటా పిల్లలను బోరంచ నల్లపోచమ్మ గుడికో, మంజీర ఒడ్డుకో తీసుకెళ్తాం. టీచర్లంతా కూర్చొని ఎక్కడికి, ఎంత దూరం, ఏ బండిలో అని లెక్కలు వేస్తుంటారు. నేను ఆ మాటల్లోకి ఆలస్యంగా దిగుతాను. ముందు తరగతి గదిలోకి పోయి, ఈ ఏడు మన పిల్లల్లో అందరికంటే మెల్లగా నడిచేది ఎవరో చూసి వస్తాను. ఆ పిల్ల పేరు చెప్పి, ఆమె నడవగలిగినంత దూరమే పోదామంటాను. మొదట్లో కొందరు విసుక్కునేవాళ్ళు. ఇప్పుడు నన్ను చూడగానే వాళ్ళే అడుగుతున్నారు, ఈసారి ఎవరు మేడం అని.