సంగతి ముందు చెప్పాలా, లేచేటప్పుడు చెప్పాలా

ఆ రోజుల్లో మార్కాపురంలో బతకడానికి నాలాంటి వాడికి రెండే దారులు ఉండేవి. పలకల గనిలో రాయి చీల్చాలి, లేదంటే క్రైస్తవ మిషను కాంపౌండులో ఏదో ఒక కొలువు సంపాదించాలి. (అప్పటికి మేము కర్నూలు జిల్లావాళ్ళం, మద్రాసు గవర్నరు ఏలుబడిలో ఉండేవాళ్ళం. ఈ ప్రకాశం జిల్లా ఇంకా పుట్టలేదు.) మా నాయన ఊరివాళ్ళ చేలల్లో కూలికి పోయి నన్ను హైస్కూలు దాకా చదివించి, ఆ చదువు ఫలితం చూడకుండానే పోయాడు. గనికి పోతే మొదటి వారంలోనే మేస్త్రీ నా చేతులు అటూ ఇటూ తిప్పి చూసి, "ఈ చేతులు రాయికి పనికిరావబ్బాయా, బలపం పట్టేదానికైతే సరిపోతాయి" అని తేల్చేశాడు. అలా మిషనుకు కొత్తగా వచ్చిన దొరసానికి తెలుగు నేర్పే మున్షీనయ్యాను. ఇరవై రెండేళ్ళ వయసు, కొత్తగా మొలిచిన మీసం, భుజాన కండువా. తెలుగు భాష మొత్తం నా చంకలో మూటకట్టి ఉందన్న నమ్మకం నాది. ఆ మూట ముడి విప్పడానికి దొరసానమ్మకు పట్టుమని పది రోజులు కూడా పట్టలేదు.

ఆవిడ మా దగ్గరికి నేరుగా తన దేశంనుంచి రాలేదు. అంతకుముందు జపాను దేశంలో కొన్నేళ్ళు బడి నడిపి, అక్కడి చలి పడక మా ఎండలకు వచ్చింది. (చలి పడనివాళ్ళను మార్కాపురం పంపిన ఆ పెద్దలెవరో గాని మనిషిని సరిగ్గానే అర్థం చేసుకున్నారు, మందు మోతాదే కాస్త ఎక్కువైంది.) ఒకరోజు పాఠం మధ్యలో ఆవిడ హఠాత్తుగా, "మున్షీగారూ, తెలుగులో 'వా' ఎక్కడ ఉంది?" అని అడిగింది. 'వా' అంటే ఏమిటని అడిగాను. అప్పుడు వివరించింది. జపాను వాళ్ళు ఏ సంగతి మాట్లాడబోతున్నారో ముందు ఆ మాట చెప్పి, దాని వెనక 'వా' అని ఒక చిన్న ముక్క తగిలిస్తారట. 'నేను వా' అంటే ఇక నా గురించి వినండి అని. 'మార్కాపురం వా' అంటే ఇక మార్కాపురం సంగతి అని. ఆ తరవాత నీళ్ళు తక్కువనో ఎండ ఎక్కువనో చెప్పవలసింది చెబుతారట. "ఆ ముక్క వినగానే మనసు అటు తిరుగుతుంది. మీకు అటువంటిది లేదా?" అంది. లేదంటే తెలుగుకు తలవంపులు. ఉందంటే చూపించాలి. "ఉండకేమండీ, రేపు చెబుతాను" అని ఇంటికి వచ్చి రాత్రంతా అటూ ఇటూ దొర్లాను.

మర్నాటి నుంచి ఇద్దరం 'వా' కోసం వేటలో పడ్డాం. మొదట దొరికింది వంట చేసే బట్లరు తాత. ఆయనది మద్రాసు వైపు. అరవంలో 'నాన్ వందు' అన్నట్టే తెలుగులోనూ, "నేను వచ్చి, మద్రాసులో వచ్చి, పెద్ద దొరల దగ్గర పనిచేసినానమ్మా" అనేవాడు. "ఇన్నిసార్లు ఎవరు వస్తున్నారు?" అని ఆవిడ వాకిలి వైపు చూసింది. ఎవరూ రావడం లేదనీ, అరవంవాళ్ళు చెప్పబోయే సంగతిని అలా 'వచ్చి' అని ముందు కూర్చోబెడతారనీ నేను చెప్పాను. తరవాత బజారులో పలకల దుకాణం సాయిబు పట్టుబడ్డాడు. ఆయన తమ్ముడితో పోట్లాడుతూ, "మై తో బోల్యా, వో తో సున్యా నై" అంటున్నాడు. నేనైతే చెప్పాను, వాడైతే విన్లేదు అని. ఆవిడకు ఆ పోట్లాటలో 'తో' తప్ప మరేమీ వినపడలేదు. సంతోషం పట్టలేక సాయిబు చెయ్యి పట్టుకుని ఊపింది. తమ్ముడు ఆ సందులో తప్పించుకుపోయాడు. "మరి మీ ఇంగ్లీషులో ఏముందమ్మా?" అని అడిగాను. ఆవిడ, "మేము చాలాసార్లు గొంతు పెంచుతాం" అని, 'నేను' అన్న మాటను ఇంగ్లీషులో ఒకసారి పలికి చూపింది. పెంకుమీది కాకి లేచిపోయింది.

తెలుగులో లేకపోవడమేం, వెతికితే ఇల్లంతా అవే. "నాయనా? చేనికి పోయినాడు" అని ఊరికే మాట సాగదీసి వదిలేస్తాం. "నేనేమో ఇక్కడ, వాడేమో అక్కడ" అంటాం. "వాన సంగతంటారా" అని మొదలుపెడతాం. వీటన్నిట్లోకీ ఆవిడకు నచ్చింది 'అయితే'. నేనూ ఉత్సాహంకొద్దీ ముందూ వెనకా చూసుకోకుండా, "ఏ సంగతి చెప్పాలో అది ముందు పెట్టండి, వెనక 'అయితే' పెట్టండి, తిరుగులేదు" అని వరమిచ్చాను. ఆ 'అయితే' పక్కచూపులు చూస్తుందన్నది ఆ పూటకు నాకే తట్టలేదు. ఆవిడ బట్లరు తాతతో "కాఫీ అయితే బాగుంది" అంది. తాత ఆ పూట రొట్టె ముట్టుకోనివ్వలేదు. ఆదివారం గుడి ముందు పాస్టరు అయ్యగారితో, "ఈ వారం అయితే ప్రసంగం బాగుంది" అంది. అయ్యగారు నన్ను వేపచెట్టు చాటుకు పిలిచి, "అంటే పోయిన వారం సంగతేందబ్బాయా?" అని నిలదీశాడు. నేను ఏవేవో చెప్పి బయటపడ్డాను. అయినా ఆవిడ భాష చక్కగా సాగుతోంది, నా కొలువు నిలబడింది, అదే చాలనుకున్నాను.

ఇంతలో నా సంగతి ఒకటి వచ్చిపడింది. అంతకుముందు క్రిస్మస్ సభలకు గిద్దలూరు వైపు నుంచి వచ్చిన జనంలో ఒక పిల్ల ఉంది. నేను వాక్యం చదువుతూ తడబడ్డ చోట అందరూ తలలు వంచుకుంటే ఆ పిల్ల ఒక్కతే పైకి నవ్వింది. ఆ నవ్వు నన్ను వదల్లేదు. మాకు వరసైన వాళ్ళేనని అమ్మ విచారించి పెట్టింది. ఒక సాయంత్రం ఇంటికి పోతే అమ్మ పొయ్యి ముందు కూర్చుని, "గిద్దలూరు మామ కూతుర్ని కంభం వాళ్ళు అడిగినారంట. వచ్చే ఆదివారం మాట ఇస్తాడంట. మీ నాయనే ఉంటే ఈ పాటికి పోయి ఆ ఇంట్లో కూచ్చోనుండు. నాకు అట్ల పోయి మాట్లాడేది చాతకాదు. నువ్వు ఒక్కడివే పోగూడదు, పోయినా నోరు లేనోడివి" అంది. (పెళ్ళికొడుకు వెంట పోవచ్చుగాని తన సంబంధం తానే మాట్లాడకూడదు, అది మా వైపు కట్టుబాటు.) మర్నాడు పాఠంలో నా ముఖం చూసి దొరసానమ్మ ఏమైందని అడిగింది. చెప్పాను. ఆవిడ కుర్చీలోంచి లేచి నిలబడి, "నేను అయితే వెళ్తాను" అంది. దొరసానే పెద్దమనిషిగా వస్తే కాదనేవాడెవడని నేను పొంగిపోయాను. అంత తెలివిగలవాణ్ణి.

శనివారం రైలుబండిలో గిద్దలూరు దాకా పోయి, అక్కడినుంచి ఎడ్లబండిలో వాళ్ళ పల్లెకు చేరాం. దారిపొడుగునా ఆవిడ పెదవులు కదుపుతూ వాక్యాలు అప్పజెప్పుకుంటూనే ఉంది. మామ గొర్రెలదొడ్డి నుంచి పరుగున వచ్చి, నులకమంచం మీద దుప్పటి పరిచి కూర్చోబెట్టాడు. ఆవిడ గొడుగు పక్కన పెట్టింది, సర్దుకుంది, ఆయన ముఖంలోకి సూటిగా చూసి గుక్క తిప్పుకోకుండా అంది: "మీ కూతురు అయితే నాకు నచ్చింది. మా మున్షీ అయితే మంచివాడు. పెళ్ళి అయితే ఎప్పుడు?"

మామ ఇంటికప్పు వైపు చూశాడు. నేల వైపు చూశాడు. ఆ తరవాత చాలా మర్యాదగా, "ఎండలు మండిపోతా ఉండాయమ్మా ఈ తూరి" అన్నాడు.

ఆవిడ నా వైపు తిరిగింది, నా వాక్యంలో తప్పేముందన్నట్టు. వాక్యంలో తప్పేమీ లేదు. తప్పంతా మంచం మీద కూర్చోగానే చెప్పడంలో ఉంది. మా వైపు ఒక పని మీద ఒక ఇంటికి పోతే ఆ పని ఊసు రాగానే ఎత్తరు. వానలు, జొన్నలు, గొర్రెలకు వచ్చిన రోగాలు, బాటలో గుంతలు, ఇవన్నీ అయిపోవాలి. మజ్జిగ తాగాలి. లేచి గడప దాకా పోవాలి. గడప మీద ఒక కాలు పెట్టి, ద్వారబంధం పట్టుకుని, అప్పుడే గుర్తొచ్చినట్టు "అన్నట్టు మామా..." అనాలి. ఆ మాటే లెక్క. రాగానే అన్నది ఎవరూ విననట్టు ఉండాలి, అది వచ్చినవాళ్ళ మర్యాద కాపాడటం. మామ అదే చేశాడు. వాక్యంలో సంగతి ముందుండాలని నేర్పిన నేను, ఇంటికి పోయినప్పుడు సంగతి చివర ఉండాలని నేర్పనే లేదు. ఊపిరి పీల్చడం ఎవరైనా పాఠంగా చెబుతారా?

ఇక మాటలు మొదలయ్యాయి. "వానలు అయితే లేవు" అంది ఆవిడ, దిగులుగానే, కాని తప్పు లేకుండా. "జొన్న అయితే ఎండింది. గొర్రెలు అయితే బాగున్నాయి." మామకు ఉత్సాహం వచ్చింది. "దొరసానమ్మకు సేద్యం బాగా తెలుసు" అని లోపలికి కేక వేసి చెప్పాడు. లోటాల నిండా మజ్జిగ వచ్చింది, తాగితే మళ్ళీ వచ్చింది. తలుపు సందులోంచి గాజుల చప్పుడు ఒకసారి వినిపించింది. నేను మాత్రం పెద్దవాళ్ళ మధ్య మూగెద్దులా కూర్చుని, లేచేటప్పుడు ఆవిడ మళ్ళీ అడిగితే చాలు దేవుడా అని ప్రార్థన చేసుకుంటున్నాను. మామ ఎదుట చెవిలో చెప్పే వీలు లేదు, ఇంగ్లీషులో చెబుదామంటే సభలో గుసగుసలాడినట్టుంటుంది.

పొద్దు వాలింది. ఆవిడ గొడుగు తీసుకుని లేచింది. లేస్తూ నాతో తన భాషలో చిన్నగా, "నన్ను క్షమించు. వాళ్ళకు ఇష్టం లేదు. మా దేశంలో ఒకసారి అడిగినదానికి జవాబు రాకపోతే రెండోసారి అడగడం మర్యాద కాదు" అంది. ఆవిడ కళ్ళు తడిగా ఉన్నాయి. అలా కాదని నేను చెప్పేలోపే మామ మాకంటే ముందు గడప దగ్గరికి పోయి, దారి ఇచ్చీ ఇవ్వనట్టు నిలబడి, "ఇంకేమన్నా ఉండాదా అమ్మా?" అని అడిగాడు. పాపం, అందివ్వగలిగినంత అందించాడు. ఆవిడ తల ఎత్తి, ఎంతో హుందాగా, "ఏమీ లేదు. వెళ్ళి వస్తాం" అని గడప దాటి బండి వైపు నడిచింది.

మామ ముఖం వాడిపోయింది. వచ్చినవాళ్ళు పిల్ల ఊసు ఎత్తకుండా గడప దాటారంటే పిల్ల నచ్చలేదని. లోపల ఎవరో చెంబును నేలమీద గట్టిగా పెట్టారు. రేపు ఆదివారం, కంభం వాళ్ళు వస్తారు. నేను ఇప్పుడు ఈ గడప దాటితే అంతే సంగతులు. నా కాళ్ళు నిలబడిపోయాయి. చెయ్యి ద్వారబంధం మీద పడింది.

"మామా, నేనైతే..." అన్నాను.

"ఆఁ, నువ్వైతే?" అన్నాడు మామ, ఒక అడుగు దగ్గరికి వచ్చి.

"మజ్జిగ..." అన్నాను. ఎందుకన్నానో నాకు ఈనాటికీ తెలీదు.

"మజ్జిగ కావాల్నా?"

"కాదు మామా." కళ్ళు గట్టిగా మూసుకున్నాను. "కంభం వాళ్ళకు మాట ఇయ్యబాకండి."

లోపలినుంచి ఒక నవ్వు వినిపించింది. క్రిస్మస్ సభల్లో విన్న నవ్వే అది. మామ నా చెయ్యి ద్వారబంధం మీంచి తీసి తన చేతిలో పెట్టుకుని, "ఈ మాట కోసరం మజ్జిగ కుండంతా ఖాళీ చేసినారేందబ్బాయా!" అన్నాడు. ఆ తరవాత బండి వైపు తిరిగి కేకేశాడు: "దొరసానమ్మా! దిగి రాండి. అన్నం తిని పోదురు." మా వైపు ఆ వేళప్పుడు అన్నం తినిపొమ్మంటే ఒప్పుకున్నట్టే. కాదనుకున్న ఇంట్లో మజ్జిగతోనే సరిపెడతారు.

దొరసానమ్మకు ఇదేమీ అంతు పట్టలేదు. జొన్నసంకటీ గోంగూరా తిని, తిరుగు రైలెక్కాక, "ఇంతకీ వాళ్ళు ఎప్పుడు ఒప్పుకున్నారు?" అని అడిగింది. చెప్పాను. కిటికీలోంచి చీకట్లో నల్లమల ఉన్న వైపు చూస్తూ, "ఇది నాకు పాఠంలో ఎందుకు చెప్పలేదు?" అంది. "ఇది నేర్పాల్సినదని నాకే తెలీదమ్మా" అన్నాను. ఆవిడే మా పెళ్ళికి కేకు చేయించింది. పెళ్ళిలో అయ్యగారితో "ఈ పెళ్ళి అయితే బాగుంది" అంటే, ఆయన ఈసారి గొడవ పెట్టుకోలేదు.

అదంతా జరిగి ఒక జీవితకాలం అయింది. దొరసానమ్మ ఆ తరవాత కొన్నాళ్ళకు తన దేశం వెళ్ళిపోయింది. నేను బడిపంతులునై ఎందరికో వ్యాకరణం చెప్పాను. ఇప్పటికీ మనవరాళ్ళెవరైనా మా ఆవిడను, "తాత నిన్ను ఏమని అడిగినాడవ్వా?" అంటే, ఆమె వేరుశనక్కాయలు వలుస్తూ తల ఎత్తకుండా చెబుతుంది: "నన్నెక్కడ అడిగినాడు? కంభం వాళ్ళకు ఇయ్యొద్దన్నాడు, అంతే. నన్ను తనకియ్యమని ఈ పొద్దు దాకా అడగలా." అందరూ నా వైపు చూసి నవ్వుతారు. నిజమే, అడగలేదు. ఎన్నోసార్లు ఆమె దగ్గర కూర్చుని ఆ మాట ఇప్పుడైనా అనేద్దామనుకుంటాను. ముందు వానల సంగతి ఎత్తుతాను, తరవాత మోకాళ్ళ నొప్పుల సంగతి, తరవాత ఆమె లేచి పనిలోకి పోతుంది. ద్వారబంధం పట్టుకుని తడబడిన ఆ మీసాల కుర్రవాడు అంత భయంలోనూ సగం మాటైనా అనగలిగాడు. మిగతా సగం ఈ ముసలాడి వంతు.