ఓజెల్లా ఆపిన మంట

మొండితనానికి మందు లేదంటారు. ఓజెల్లా విషయంలో ఆ మందు ఎవరూ వెతకలేదు కూడా, ఎందుకంటే ఆమె మొండితనం చూసేవాళ్లకు అచ్చం ప్రేమలాగే ఉండేది.

అలబామా దక్షిణపు కొసన, పైన్ అడవి పల్లానికి దిగి కాలు కూరుకుపోయేచోట ఆమె ఇల్లు. ఇంటి వెనక చిత్తడినేల, దాని నిండా బూరలు. అక్కడివాళ్లు ఆ మొక్కల్ని బూరలనే అంటారు. ఆకే చుట్టుకుని నిలువు గొట్టంలా లేస్తుంది, పైన ఎర్రటి ఈనెలతో తెల్లటి మూత. తీపివాసనకు వచ్చిన ఈగ అంచున కాలు జారిందా, ఇక బయటికి రాదు. ఆ నేలలో సారం లేదు, ఈగల్ని తినే బతకాలి. ఎండలు తగ్గే రోజుల్లో ఓజెల్లా బూరలు కోసి, కట్టలు కట్టి పట్నంలో పూలకొట్లకు పంపేది. కోసేముందు గొట్టంలో వేలు పెట్టి చూసేది.

“దీని కడుపు నిండింది, కొయ్యొచ్చు. ఇది పాపం ఇంకా తింటోంది.”

“నా కంచంలోకి ఎప్పుడైనా అలా తొంగిచూశావా?” అనేవాడు ఆమె మొగుడు హాలిస్.

“నీ కడుపు నిండటం నేనెప్పుడు చూశాను గనక?”

బూరలకు ఈగలు ఎంత అవసరమో నిప్పూ అంతే. ఏటా ఫిబ్రవరిలో వాన వెలిసి ఉత్తరపు గాలి తిరిగిన పొద్దున చిత్తడిని కాల్చాలి. లేకపోతే పొదలు కమ్మేసి ఎండ తగలనివ్వవు. మంట గడ్డినీ పొదల్నీ నాకేసి పోతుంది, బురదలో దుంపలు చల్లగా ఉంటాయి. హాలిస్, అతని తమ్ముడు క్లీవ్ కలిసి కాల్చేవారు, వాళ్ల నాన్న దగ్గర నేర్చిన పనే. జిగురుపట్టిన పైన్ చెక్కల కాగడాతో ఒకడు దక్షిణపు అంచున గాలికి ఎదురు ముట్టించి, నల్లగా కాలిన పట్టీ వేస్తాడు. అది అయ్యాక కేక వేస్తాడు. కేక విన్నాకే రెండోవాడు ఉత్తరాన ముట్టించాలి. ముందు ముట్టిస్తే మంట గాలి మీద పరుగెత్తి మొదటివాడి మీదికే వస్తుంది.

ఆ ఏడు దక్షిణాన హాలిస్, ఉత్తరాన క్లీవ్. పొగ తేలాక చూస్తే హాలిస్ బురదలో బోర్లా పడి ఉన్నాడు. ఒంటిమీద ఒక్క బొబ్బ లేదు. డాక్టరు గుండె ఆగిందన్నాడు. ఓజెల్లా ఒప్పుకోలేదు.

సమాధి చేసి వచ్చాక, ఇరుగుపొరుగు తెచ్చిన చేపల వేపుడూ మొక్కజొన్న రొట్టే బల్లమీద ఉండగానే, అందరి ముందూ అడిగింది.

“కేక విన్నావా క్లీవూ?”

“విన్నా వదినా.”

“కంచె పక్కన నిలబడి చూసినవాళ్లు వినలేదంట. నీ ఒక్కడికే వినిపించిందా? నీకెప్పుడూ తొందరే.”

క్లీవ్ తల దించుకున్నాడు.

“ఇన్ని ప్రాణాలున్నచోట నిప్పెట్టడానికి మనసెలా వస్తుంది మీకు? ఇక నా నేలలో అగ్గిపుల్ల గీసినవాడు నాకు పగవాడే,” అంది.

మరుసటి ఫిబ్రవరిలో క్లీవ్ బండి కంచె దగ్గర ఆగింది, వెనక పైన్ చెక్కల మోపు.

“వదినా, గాలి ఉత్తరం తిరిగింది.”

“నీ గాలి సంగతి నాకు తెలుసులే.”

ఏటా వచ్చాడు, ఏటా అదే మాట తిని వెళ్లాడు. చివరికి రావడం మానేశాడు.

పొదలు మాత్రం మానలేదు. ఓజెల్లా చేతికత్తితో నరికేది, నరికినచోటల్లా గుంపుగా లేచేవి. బూరలు తగ్గుతుంటే నీళ్లు లాగేస్తోందని రోడ్డు పక్క కాలవను తిట్టింది, వానల్ని తిట్టింది, దొంగలు తవ్వుకుపోతున్నారంది. సంగతి చర్చిలో అందరికీ తెలుసు. కానీ పిల్లి మెడలో గంట ఎవరు కడతారు? వాళ్ల మర్యాద ఎందుకు కాల్చనా? నోరు విప్పని ఆ మంచితనమూ చిత్తడి గొంతు నులిమింది.

ఏటా మొదటి కట్ట హాలిస్ సమాధి మీద పెట్టడం ఆమె అలవాటు. ఒక ఏడు కట్టకు సరిపడా దొరకలేదు. పొదల కింద పాకి వెతికితే ఒకే ఒక్కటి కనిపించింది. పాలిపోయి, సన్నగా, మూత సగమే విప్పుకుని ఉంది. అలవాటుగా వేలు పెట్టింది. లోపల ఏమీ లేదు. ఈగ రెక్క కూడా లేదు.

అక్కడే కూలబడి ఏడ్చింది. హాలిస్‌ని ఎవరు చంపారో దేవుడికి తెలియాలి, వీటిని మాత్రం నేనే చంపుకున్నాననుకుంది.

తిన్నగా క్లీవ్ ఇంటికి వెళ్లింది. అతను వసారాలో కూర్చుని ఉన్నాడు. ముక్కులో ప్రాణవాయువు గొట్టం, కుర్చీ పక్కన సిలిండరు.

“కాల్చాలి క్లీవూ.”

“ఇప్పుడా?” సిలిండరు మీద తట్టాడు. “నా దగ్గర అగ్గిపుల్ల గీస్తే ముందు కాలేది నేనే.”

ఆమె సిలిండరు వైపు చూస్తూ అడిగింది, “ఆ రోజు కేక నిజంగా విన్నావా?”

“విన్నాననే అనుకున్నా. ఇంటికెళ్లాక అనుమానమొచ్చింది. ఆ అనుమానం ఎవరితోనన్నా చెప్పుకోవాలంటే నువ్వే ఉన్నావు. నువ్వేమో మాట్లాడనిచ్చావు కాదు.”

 మళ్లీ అతనే అన్నాడు, “నీ చిత్తడి చుట్టూ ఇళ్లు లేచాయి వదినా. వాళ్లు ఒప్పుకోందే ఇప్పుడు కాల్చడానికి అటవీశాఖ అనుమతివ్వదు. వెళ్లి అడుగు.”

మొదటి ఇల్లు మారిబెత్‌ది. ఊరికి కొత్త, బూరలంటే ప్రాణం, వాటి బొమ్మకు పటం కట్టించి గోడకు తగిలించుకుంది. చల్లటి తీపి టీ ఇచ్చి, చెప్పిందంతా శ్రద్ధగా వింది. విన్నాక కళ్లలో నీళ్లు తిరిగాయి.

“ఓజెల్లా గారూ, ఇన్ని ప్రాణాలున్నచోట నిప్పు పెడతారా? మనసెలా వస్తుందండీ మీకు?”

ఓజెల్లా ఆమెను తిట్టలేకపోయింది. తిడితే ఎవర్ని తిట్టినట్టు? టీ సగంలో వదిలేసి లేచింది. మిగతా ఇళ్లకూ వెళ్లింది. ఒక్కరూ ఒప్పుకోలేదు.

ఫిబ్రవరి వచ్చింది. వాన వెలిసిన పొద్దున ఓజెల్లా క్లీవ్ వసారా మెట్ల దగ్గర నిలబడింది.

“క్లీవూ, గాలి ఉత్తరం తిరిగింది.”

“నీ గాలి సంగతి నాకు తెలుసులే వదినా,” అన్నాడు క్లీవ్, పక్క కుర్చీని కాలితో ఆమె వైపు తోస్తూ. ఆమె కూర్చుంది. చేయడానికి ఇద్దరికీ పనేమీ లేదు.