గౌరీశ్వరి అరకు వెళ్లిన రోజు

గౌరీశ్వరి పెళ్లై విశాఖపట్నం వచ్చేనాటికి స్టీలు ప్లాంటులో కొలిమి వెలిగి ఎంతో కాలం కాలేదు. భర్త శ్రీరామ్మూర్తిది చీపురుపల్లి వైపు ఊరు. ఆమె పుట్టిల్లు దానికి పక్క ఊరే. రెండు కుటుంబాల్లోనూ గోగు, వేరుశనగ పండించేవాళ్లే తప్ప నెల జీతం చూసినవాడు లేడు. మొదట చూసింది శ్రీరామ్మూర్తి. ఉక్కు కరిగించే విభాగంలో అతను క్రేన్ ఆపరేటరు. నాలుగైదంతస్తుల ఎత్తున పట్టాల మీద నడిచే క్రేనుకి వేలాడే చిన్న గదిలో కూర్చుని, కరిగిన ఉక్కు నిండిన పెద్ద బానని ఒక చోటి నుంచి ఇంకో చోటికి చేర్చడం అతని పని. కింద నిలబడినవాళ్ల ప్రాణాలు అతని చేతిలోని మీటల మీద ఉండేవి. రిటైరయ్యే దాకా అతని చేతి మీద ఒక్క ప్రమాదం జరగలేదు. ఆ సంగతి అతను ఎవరికీ చెప్పుకోలేదు గానీ, అతని నడకలో అది కనిపించేది.

ఇల్లు అతని షిఫ్టుల ప్రకారం నడిచింది. రాత్రి డ్యూటీ చేసి వచ్చి పడుకున్న రోజున కూర్మన్నపాలెంలోని ఆ రెండు గదుల్లో కుక్కరు కూత వేయకూడదు, కూతురు దేవిశ్రీ పైకి చదవకూడదు. ఊరు వెళ్లడమైనా, పండక్కి బట్టలైనా, కూతుర్ని ఏ బడిలో వేయాలన్నదైనా అతనే ఆలోచించి చెప్పేవాడు. కసిరేవాడు కాదు. తేల్చి చెప్పేవాడు, అంతే. గౌరీశ్వరికి కూడా అందులో పెద్ద ఇబ్బంది తోచలేదు.

ఊరి నుంచి చుట్టాలు వచ్చి అరకు చూసి వెళ్లేవారు. వాళ్లకి పులిహోర కట్టి ఇచ్చేది ఆమె. తిరిగొచ్చాక వాళ్లు మేఘాల గురించి, గుహల గురించి చెబుతుంటే వినేది. ఒకసారి తామూ బయల్దేరి కిరండూల్ పాసింజరు ఎక్కారు. కొత్తవలస చేరేసరికి పిల్లకి జ్వరం ఎక్కువై దిగిపోయారు. ఆ తర్వాత మళ్లీ కుదరలేదు.

అతను రిటైరయ్యాక వచ్చిన కార్తీకంలో దేవిశ్రీ ఇద్దరికీ సీట్లు బుక్ చేసింది. ద్వారకా నగర్ నుంచి నీలిమ అనే అమ్మాయి చిన్న చిన్న బృందాల్ని ఘాట్ రోడ్డు మీదుగా అరకు తీసుకెళ్లి సాయంత్రానికి తెచ్చి దింపుతుంది. శ్రీరామ్మూర్తి, ఎవరో పెళ్లికి పిలిచినట్టు, "సరే, సూసొద్దాం" అన్నాడు.

ఎన్.ఏ.డి. కూడలి దగ్గర టెంపో ట్రావెలరు వాళ్లని ఎక్కించుకుంది. లోపల పదిమంది కూడా లేరు. బ్యాంకులో పనిచేసే ఇద్దరు ఆడవాళ్లు, కొత్తగా పెళ్లైన ఒక జంట, కోచింగ్ సెంటర్లో ఫిజిక్సు చెప్పే గుణశేఖర్ అనే ఆయన. నీలిమ ముందు సీట్లోంచి వెనక్కి తిరిగి, "మనది టూరిస్టు బస్సు కాదండీ, ఎక్కడ బాగుంటే అక్కడ ఆగుదాం" అంది. శ్రీరామ్మూర్తి కిటికీ పక్కన కూర్చున్నాడు. గౌరీశ్వరి అతని పక్కన కూర్చుని, సంచి ఒళ్లో పెట్టుకుంది.

శృంగవరపుకోట దాటేదాకా అతను మాట్లాడుతూనే ఉన్నాడు. ఘాట్ మొదలైన కాసేపటికి మాట ఆగింది. మలుపులు పెరిగేకొద్దీ రోడ్డు పక్కన చెట్ల తలలు కిందకి దిగసాగాయి. కిటికీ లోంచి ఇక లోయ తప్ప ఇంకేమీ కనిపించలేదు. గౌరీశ్వరి అతని వైపు చూసింది. ముందు సీటు కడ్డీని రెండు చేతులతో పట్టుకుని ఉన్నాడు. చొక్కా మెడ దగ్గర తడిసిపోయింది.

"ఏటండి, కడుపులో తిప్పతందేటి?"

అతను తల అడ్డంగా ఊపాడు. అంతలో మలుపులో ఎదురుగా ఆర్టీసీ బస్సు వచ్చింది. డ్రైవరు కోటి వ్యానుని అంచుకి జరిపాడు.

"ఆపు," అన్నాడు శ్రీరామ్మూర్తి. గొంతు అతనిది కాదన్నట్టు వచ్చింది. "బండి ఆపు."

"ఇక్కడ ఆపితే ఎనకొచ్చీవోడు గుద్దేత్తాడు బాబాయ్," అన్నాడు కోటి. "డముకు కాడ ఆపుతాను. ఇంకెంతో లేదు."

డముకు వ్యూ పాయింట్ దగ్గర అందరూ దిగి లోయ వైపు కంచె దగ్గరికి నడిచారు. శ్రీరామ్మూర్తి దిగి, రోడ్డు దాటి, ఎదుటి వైపు కొండకి వీపు ఆనించి ఒక రాయి మీద కూర్చున్నాడు. ఆ పక్కనే గురువమ్మ అనే ఆవిడ కొట్టు ఉంది. టీ పెడుతుంది, వెదురు బొంగుల్లో చికెన్ కాలుస్తుంది. అతన్ని చూసి ఏమీ అడక్కుండా మంచినీళ్లు ఇచ్చింది.

నీలిమ మాత్ర తెచ్చింది. మధ్య సీట్లో కూర్చుంటే తెలియదని చెప్పింది.

"మాత్రకి తగ్గీది కాదమ్మా ఇది," అన్నాడతను. "నాను ఆ బండి ఎక్కను."

"కిందకి కారు పిలవమంటారా అంకుల్?"

"అదీ ఇదే రోడ్డు మీద ఎల్లాల కదా. వొద్దు."

గుణశేఖర్ కెమెరా మెడలో వేసుకుని వచ్చి కాస్త దూరంలో నిలబడ్డాడు. "బొర్రా గుహల్లో జనం పెరిగిపోతారు మేడమ్," అన్నాడు నెమ్మదిగా. ఆయన అన్నది అబద్ధమేమీ కాదు. నీలిమ అటూ ఇటూ చూసి గౌరీశ్వరితో, "ఆంటీ, మీరూ ఇక్కడే ఉంటారు కదా? సాయంత్రం వచ్చేటప్పుడు ఇద్దర్నీ ఎక్కించుకుంటాం," అంది.

గౌరీశ్వరి సంచి అప్పటికే వ్యానులోంచి దింపేసుకుంది. ఎప్పుడు దింపుకుందో ఆమెకే గుర్తులేదు. దాన్ని చేతిలో చూసుకుంది. రోడ్డు పైకి మలుపు తిరిగి చెట్లలో కలిసిపోతున్న చోటు చూసింది.

"నాను ఎల్తానమ్మా," అంది నీలిమతో.

తర్వాత భర్త వైపు తిరిగింది. సంచిలోంచి టిఫిన్ డబ్బా, బీపీ మాత్రల పట్టీ తీసి రాయి మీద పెట్టింది. "ఇది తినీసి మాత్ర ఏసుకోండి. కొట్టు ఉంది, ఈయమ్మ ఉంది. సాయంత్రం ఒచ్చెత్తాను."

అతను తలెత్తి చూశాడు. "నువ్వొక్కదానివీనా?"

"ఒక్కదాన్నేటి, ఇంతమంది ఉన్నారు."

వద్దనడానికి అతనికి అలవాటైన మాటలు చాలా ఉండేవి. కొండకి ఆనుకుని కూర్చున్న మనిషికి అవి నోటికి రాలేదు. ఆమె రోడ్డు దాటి వ్యాను ఎక్కింది. ఖాళీగా ఉన్న కిటికీ సీట్లో కూర్చుంది.

మొదటి కొన్ని మలుపులు ఆమె లోయని చూడలేదు. అతను తిన్నాడో లేదో అనుకుంటూ ఉంది. బొర్రా చేరాక మెట్లు దిగాల్సి వచ్చింది. మోకాళ్లు నొప్పి. బ్యాంకు ఆడవాళ్లలో ఆశ అనే ఆమె చెయ్యి అందించింది. గుహలో పైనుంచి నీటి బొట్లు పడుతున్నాయి. ఒక బొట్టు గౌరీశ్వరి పాపిట్లో పడి నుదుటి మీదికి జారింది. ఆమె దాన్ని తుడుచుకోలేదు. నీలిమ ఆ రాళ్లు ఎలా పెరుగుతాయో చెప్పింది. గౌరీశ్వరి విన్నది సగమే. ఆ చల్లదనంలో నిలబడటం బాగుంది, అది చాలనిపించింది.

మెట్లెక్కి పైకి వచ్చాక ఆశ అడిగింది. "అంకుల్‌కి ఫోన్ చేశారా?"

"సిగ్నల్ ఉండదన్నారు కదమ్మా."

అన్నారన్నది నిజమే. కానీ ఆమె ఫోను బయటికి తీయనే లేదు.

అనంతగిరి కాఫీ తోటల్లో పొడుగాటి సిల్వర్ ఓక్ చెట్లకి మిరియాల తీగలు చుట్టుకుని ఉన్నాయి. కాఫీ పళ్లు ఎర్రబడుతున్నాయి. అక్కడికి వచ్చేసరికి ఆమె భర్త సంగతి మరిచిపోయింది. మరిచిపోయానని గాలికొండ దగ్గర దిగాక తెలిసింది. మేఘం కాళ్ల కిందుంది. అది తొలగినప్పుడు కొండల వెనక కొండలు కనిపించి, మళ్లీ మూసుకుపోయాయి. ఊరి చుట్టాలు ఇన్నేళ్లుగా చెప్పినదానికీ దీనికీ పోలిక లేదు. వాళ్లు చెప్పింది గొప్పగా ఉండేది. ఇది గొప్పగా లేదు, నిశ్శబ్దంగా ఉంది. కొత్త జంట ఫొటో తీయమని అడిగితే తీసింది. ఆ అమ్మాయి, "మీకూ తీస్తాను ఆంటీ," అంటే నిలబడింది. నవ్వమంటే నవ్వింది.

అరకులో భోజనానికి కూర్చున్నారు. వేడన్నం ఎవరో తెచ్చి వడ్డించారు. లేచి ఎవరికీ ఏమీ వేయనక్కర్లేదు. గౌరీశ్వరి నెమ్మదిగా, రెండోసారి పప్పు అడిగి వేయించుకుని తిన్నది.

తిరుగు ప్రయాణంలో డముకు దగ్గర వ్యాను ఆగింది. రాయి మీద శ్రీరామ్మూర్తి లేడు. గురువమ్మ బొంగులు కడుగుతూ లేచి వచ్చింది.

"ఆ బాబు మజ్జాన్నమే ఎలిపోనాడమ్మా. నడిసే దిగిపోతానన్నాడు. వొద్దంటే ఇన్నాడు కాదు. నా కాడ కర్రొకటి అడిగి అట్టుకెల్నాడు."

ఫోను చేస్తే అందుబాటులో లేదని వచ్చింది. నీలిమ ముఖం పాలిపోయింది. గౌరీశ్వరి వ్యానెక్కి కిటికీ పక్కన కూర్చుంది. కోటి చాలా నెమ్మదిగా నడిపాడు. పొద్దున తొందరపెట్టిన గుణశేఖర్ ముందు సీట్లోకి మారి, ప్రతి మలుపులో తల బయటికి పెట్టి చూశాడు. ఎండ ఇంకా ఉంది. ఉదయం నుంచి ఆమె చూస్తున్న లోయే అది. ఇప్పుడు మాత్రం పొదల్లో ఎక్కడైనా అతని తెల్లచొక్కా కనిపిస్తుందేమో అని చూసింది. కనిపించకూడదని కూడా అనుకుంది. మలుపు తర్వాత మలుపు వచ్చింది. మనిషి లేడు. తాను ఉండిపోవాల్సిందేమో అనిపించింది. ఉండిపోయి ఉంటే బాగుండేదని మాత్రం మనసు ఒప్పుకోలేదు. ఆ రెండూ ఒకేసారి ఎలా అనిపిస్తాయో ఆమెకి అర్థం కాలేదు.

దిగువన టైడా ఊరి దగ్గర ఒక టీ బడ్డీ బెంచీ మీద అతను కూర్చుని ఉన్నాడు. చెప్పులు విప్పేసి, పాదాలు ఎండలోకి చాపుకుని, బడ్డీ యజమానితో కబుర్లు చెబుతున్నాడు. చేతిలో టీ గ్లాసు ఉంది. మడమల మీద బొబ్బలు.

గౌరీశ్వరి దిగి వెళ్లి ఎదురుగా నిలబడింది.

"సెప్పకుండా ఎలిపోతారేటి?" అంది. "ఏటయ్యిందో అనుకుని సచ్చిపోనాను."

"ఫోను అందలేదు. కింద కలుత్తావు కదా అనుకున్నాను." అతని ముఖం తేటగా ఉంది. "నడుత్తుంటే ఏటీ అనిపించలేదు గౌరీ. మొదట కొండనానుకుని నడిసినాను. తరవాత అంచుకెల్లి లోయ కూడా సూసినాను. బయమెయ్యలేదు."

"మరి బండిలో ఏటయ్యింది?"

అతను గ్లాసు వైపు చూస్తూ చెప్పాడు. దారంతా దాని గురించే ఆలోచించినట్టున్నాడు. "క్రేను ఎంతెత్తున ఉన్నా మీట నా సేతిలో ఉండీది. ఈడ స్టీరింగు ఆ అబ్బాయి సేతిలో ఉంది. బ్రేకు ఆడి కాలికింద ఉంది. నాను ఉత్తినే కూకోవాల. ఉత్తినే కూకోడం నా వల్ల కాలేదు."

"నాను పెళ్లైన కాడ్నుంచీ అలాగే కూకున్నాను కదా," అంది గౌరీశ్వరి.

కోపంగా అనలేదు. అప్పుడే తట్టిన సంగతిలా అంది. శ్రీరామ్మూర్తి తలెత్తాడు. టీ బడ్డీ అతను వేరే గ్లాసులు తీసుకుని లోపలికి వెళ్లాడు. శ్రీరామ్మూర్తి "ఊఁ" అన్నాడు. గ్లాసు బెంచీ మీద పెట్టి, చెప్పులు వేసుకోబోయి, బొబ్బలకి తగిలి చేత్తో పట్టుకున్నాడు.

కింద ఇంకా కొంత ఘాట్ ఉంది. గుణశేఖర్ అడగకుండానే ముందు సీటు ఖాళీ చేశాడు. శ్రీరామ్మూర్తి కోటి పక్కన కూర్చుని, ప్రతి మలుపులోనూ కుడికాలు నేలకేసి నొక్కాడు. అక్కడ బ్రేకు లేదు. కోటి అది చూసి వేగం తగ్గించాడు. గౌరీశ్వరి వెనక కిటికీ పక్కన కూర్చుంది. శృంగవరపుకోట వచ్చేసరికి ఆమె నిద్రపోయింది.

ట్రిప్పు ఎలా జరిగిందని దేవిశ్రీ ఫోనులో అడిగితే తండ్రి తన నడక గురించి చెప్పాడు, తల్లి గుహ గురించి చెప్పింది. ఒకే ట్రిప్పుకి వెళ్లారా అని కూతురు నవ్వింది. బొబ్బలు మానాక శ్రీరామ్మూర్తి పొద్దుటిపూట స్టీలు ప్లాంటు టౌన్‌షిప్పులోని సెక్టార్ల రోడ్ల మీద నడవడం మొదలుపెట్టాడు. ఒక్కోరోజు గాజువాక దాకా వెళ్లి వచ్చేవాడు.

జనవరిలో ఆశ ఫోను చేసింది. లంబసింగికి నీలిమ బండి వెళ్తోంది, వస్తారా అని అడిగింది. గౌరీశ్వరి వస్తానని చెప్పేసి, ఫోను పెట్టేశాక భర్తకి చెప్పింది.

"ఎప్పుడు?" అన్నాడతను.

"ఆదివారం."

"సలి ఎక్కువుంటాది. ఉన్ని శాలువా అట్టుకెల్లు."

ఆదివారం తెల్లవారకముందే స్కూటరు మీద తీసుకెళ్లి దింపి, వ్యాను కదిలే దాకా ఉండి వెళ్లాడు.

ఆషాఢ పున్నమికి సింహాచలం కొండ చుట్టూ జనం ముప్పై కిలోమీటర్ల పైన నడిచి గిరి ప్రదక్షిణ చేస్తారు. ఆ ఏడు శ్రీరామ్మూర్తి కూడా బయల్దేరాడు. అంత దూరం ఈ వయసులో ఎందుకని దేవిశ్రీ అంది. అతను వినలేదు. గౌరీశ్వరి నడవనంది, మోకాళ్లు సహకరించవు. ఆశ వాళ్లిల్లు సీతమ్మధారలో ఆ దారి మీదే ఉంది. వాళ్ల వీధి వాళ్లు నడిచేవాళ్లకి మజ్జిగ పోస్తుంటే, గౌరీశ్వరి వాళ్లతో బల్ల వెనక నిలబడింది. మధ్యాహ్నం దాటాక, పొద్దున్నే బయల్దేరిన గుంపులో శ్రీరామ్మూర్తి వచ్చాడు. చెమటతో, చెప్పుల్లేకుండా, మెడలో కండువాతో ఉన్నాడు. ఆమెను చూసి ఆగాడు. ఆమె గ్లాసు అందించింది.

"కాల్లెలాగున్నాయి?"

"బాగానే ఉన్నాయి."

తాగి గ్లాసు ఇచ్చేసి జనంలో కలిసి నడిచాడు. వెనక వస్తున్నవాళ్లు చేతులు చాపారు. ఆమె గ్లాసులు నింపుతూ ఉండిపోయింది.